ట్రయల్ ఆటకు ఎడమచెయ్యి చాలు

మా బావ ఎల్లేశం కంప్యూటర్లో ఆడని ఆట లేదు. చివరిదాకా ఆడిన ఆట కూడా ఒక్కటీ లేదు. చివరిదాకా ఆడాలంటే కొనాలి, బావ కొనడు. రుచి చూడమని కంపెనీలవాళ్లు ఊరికే ఇచ్చే మొదటి ముక్క ఉంటుంది చూడండి, ట్రయల్ అంటారు, అక్కడితో ఆయన ఆట సరి. కోట గుమ్మం దాకా సైన్యాన్ని నడిపించుకుని వెళ్లి, తలుపు తెరుచుకోబోతుండగా కంప్యూటర్ ఆపేసి ఇంటికొచ్చేవాడు.

"లోపల ఏముందో చూడాలని లేదా బావా?" అని అడిగాను ఒకసారి.

"ఏముంటదిరా? రాజు ఉంటడు. వాన్ని సంపుతరు. అయిపాయె. గదానికి పైసలు వెట్టాల్నా?"

గని కార్మికుడనగానే చెమట, త్యాగం, నల్లబంగారం అంటూ గొంతు బొంగురుపోయేలా మాట్లాడే వక్తలను సభల్లో చాలామందిని విన్నాను. వాళ్లలో ఎవరూ మా బావను చూసినట్టు లేదు. ఆయన బాయిలో, అంటే బొగ్గుగనిలో, పంపు ఆపరేటర్. డ్యూటీ దిగి, స్నానం చేసి, తల దువ్వుకుని, సెంటినరీ కాలనీ గేటు బయట పవన్‌కుమార్ నడిపే నెట్ సెంటర్‌కు నేరుగా వెళ్లి, వేరే గ్రహాలవాళ్ల మీద బాంబులు వేసేవాడు. అదీ మొదటి లెవల్ వరకే.

ఈ గుణం ఆటలతో ఆగింది కాదు. గోదావరిఖని వెళ్తే మిఠాయి దుకాణంలో మైసూర్‌పాక్ ముక్క అడిగి, కళ్లు మూసుకుని నమిలి, "మంచిగ కుదిరింది" అని మెచ్చుకుని, నీళ్లు తాగి వచ్చేవాడు. మా అక్క సంధ్యారాణి ఇంటికొచ్చిన చుట్టాలందరికీ ఒకటే చెప్పేది.

"పదేండ్లాయె పెండ్లయి. నన్ను గూడ ట్రయల్ మీదనే ఉంచిండు. ఏదో ఒకనాడు టైమైపోయిందని ఇంటికి తోలుతడు."

"నువ్వు ఫుల్ వర్షనే సంధ్యా," అనేవాడు బావ. "గందుకే గింత ఖర్చు."

మొదట్లో, అంటే రెండువేల రెండు మూడు ప్రాంతంలో, ఈ ట్రయళ్లు కంప్యూటర్ పత్రికలతో పాటు సీడీల మీద వచ్చేవి. అది బావకు స్వర్ణయుగం. ఒక్క లెవలే ఇచ్చేవాళ్లు కానీ ఎన్నిసార్లు ఆడినా అడిగేవాడు లేడు. అయితే పత్రిక కొనాలి కదా? బావ ఆ సమస్యను రోడ్డు మీద పరిష్కరించాడు. ఆ రోజుల్లో పనికిరాని సీడీలను ఆటోల వెనక మెరుపు కోసం కట్టుకునేవాళ్లు. మంచిర్యాల స్టేషన్ ముందు ఒక ఆటోకు అడ్డం పడ్డాడు. డ్రైవర్ పేరు గట్టయ్య.

"ఏడికి పోవాలె అన్నా?"

"ఏడికి పోను. గా ఎనుక ఏలాడేది ఇస్తవా?"

"గది దిష్టికి కట్టిన."

"దిష్టికి నిమ్మకాయ కట్టుకోవయ్యా. దీంట్ల యుద్ధవిమానముంటది!"

గట్టయ్యకు నిమ్మకాయ, మిరపకాయల దండ దక్కింది. బావకు సీడీ దక్కింది. ఎండకూ దుమ్ముకూ గీతలు పడిన సీడీ అది. విమానం లేచేది, ఎంతకీ దిగేది కాదు. అది గీతల దోషమో, లేక దిగడమన్నది కొన్నవాళ్లకు మాత్రమే ఇస్తారో ఆయనకు తెలియలేదు. ఆ విమానాన్ని ఏడాది పాటు గాల్లోనే తిప్పాడు.

ఆ నెట్ సెంటర్లో అసలు మొనగాడు మాత్రం బావ కాదు. రాజం. బావ పక్క క్వార్టరే, ఇద్దరూ బాయిలో ఒకేసారి చేరారు. తుపాకీ ఆటలో రాజం ముందు నిలిచినవాడు లేడు. ఎడమచెయ్యి మీటల మీద పరుగెత్తుతుంటే కుడిచెయ్యి మౌసు పట్టుకుని గురి చూసేది. గెలిచినప్పుడల్లా కుర్చీలో వెనక్కి వాలి, "ఎల్లిగా, నీ దుకాణం మూసుకో," అనేవాడు. ఆ ఒక్క మాట వినడానికి కుర్రాళ్లు గుమిగూడేవాళ్లు.

ఒక ఏడు రాజం సొంతూరికి పోయాడు. మక్కలు, అదే మొక్కజొన్న, పట్టే మిషన్లో కుడిచెయ్యి పడింది. మణికట్టు కింద ఇక చెయ్యి లేదు.

బాయి మీద ల్యాంప్ రూంలో తేలిక పని ఇచ్చారు. దిగేవాళ్లకు దీపాలివ్వాలి, ఎక్కేవాళ్ల దగ్గర తీసుకోవాలి. మొదటివారమే ఎవడో "ఎడమచేత్తోని ఇస్తున్నవేందన్నా, బాయిలకు దిగేటోనికి?" అని గొణిగాడట. అంతే. రాజం డ్యూటీకి పోయి రావడం, తలుపేసుకోవడం. హోటల్లో నలుగురి ముందు ఎడమచేత్తో చాయ్ గ్లాసు పట్టుకోవాల్సి వస్తుందని అటు రావడమే మానేశాడు. ఆపిల్ పండ్లు తెచ్చి "అయ్యో రాజం" అన్నవాళ్లను పండ్లతో సహా బయటికి పంపాడు. మా బావ కూడా పరామర్శకు వెళ్లాడు. అలా బయటికి పంపినవాళ్ల ఆపిల్‌లో ఒక ముక్క కోసుకుని తిని, "పులుపుంది" అని వచ్చేశాడు. ట్రయల్!

రాజం మళ్లీ నెట్ సెంటర్ గుమ్మం తొక్కుతాడా అన్నదే అందరి బెంగ. బావ మాత్రం ఆ ఊసే ఎత్తేవాడు కాదు.

నేనప్పుడు వరంగల్లో యూనివర్సిటీలో చదువుతున్నాను. సెలవులకు అక్క ఇంటికి వచ్చి చూస్తే బావ కొత్త అలవాటు పట్టాడు. మూల కంప్యూటర్ దగ్గర మౌసు ఎడమవైపు పెట్టించుకుని, కుడిచెయ్యి ప్యాంటు జేబులో దూర్చి, ఎడమచేత్తో ఆడుతున్నాడు. ఆడటమంటే ఓడటం. ముసలివాళ్లు రోడ్డు దాటినట్టు ఉండేది ఆయన సైన్యం నడక.

"ఇదేం విద్య బావా?"

"ట్రయల్ ఆటకు రెండు చేతులెందుకురా? కొన్నోడు ఆడుతడు రెండు చేతులతోని. అన్నం తినే చెయ్యి ఊరికె వచ్చినదానికి వెడుతరా?"

సెంటరంతా ఘొల్లుమంది. ఒక చెయ్యి ఖర్చు పెట్టి ఇంకో చెయ్యి జమ చేసుకునే మనిషిని నేనెక్కడా చూడలేదు. చిత్రమేమిటంటే కుర్రాళ్లకు ఇది పందెమైంది. ట్రయల్ ఆటంటే ఎడమచేత్తోనే ఆడాలి, కుడిచెయ్యి తీసినవాడు చాయ్ తాగించాలి. ఆ చాయ్ కూడా ఎడమచేత్తోనే తాగాలని బావ ఇంకో నియమం పెట్టాడు. కొన్నేళ్లకు అక్కడ కుడిచేత్తో గ్లాసందుకున్నవాడిని కొత్తవాడని గుర్తుపట్టేవాళ్లు.

ఈలోపు ఆటల కంపెనీలకు తెలివి పెరిగింది. సీడీలు పోయి, నెట్‌లోంచి దింపుకోమన్నారు. దేశానికి వెలుగులిచ్చే ఊరని మా గురించి గొప్పగా చెబుతారు. కాలనీ గేటు దాటితే రోజూ కరెంటు కోతే. దింపుకున్నది చివరికి రాగానే దీపం పోయేది. తర్వాత ఆట మొత్తం ఇచ్చి, ఒక గంటే ఆడుకోమన్నారు. తెర మూల గడియారం. ఊరికే చూస్తూ కూర్చున్నా తిరుగుతూనే ఉండేది. బావ స్నానం, భోజనం, అన్నీ ముగించుకుని, అక్కతో ఏ పనీ లేదని మాట తీసుకుని, అప్పుడు గాని మీట నొక్కేవాడు కాదు.

గంట కాగానే ఒకటే తీర్పు. "పనికిరాదు."

"ఏం బావా, బాగానే ఉంది కదా?"

"ఉరికిచ్చి ఉరికిచ్చి సంపుతది. వద్దు."

కొననివాడికి వంకలెక్కువని నేను నవ్వుకునేవాణ్ణి.

ఆ తర్వాత ప్రతి కంపెనీ సొంత దుకాణం తెరిచింది. పేరు, పుట్టిన తారీఖు, ఈమెయిలు ఇచ్చి ఖాతా తెరిస్తేనే ట్రయల్. ఒక ఖాతాకు ఒక్కసారే. బావ మా క్వార్టర్ల వరుసంతా తిరిగి జనాభా లెక్కలవాడిలా తారీఖులు పోగుచేశాడు. ఆఖరికి వాళ్లమ్మ లస్మవ్వ దగ్గర కూర్చున్నాడు.

"అవ్వా, నువ్వెప్పుడు పుట్టినవే?"

"పెద్దవానలు వడ్డ యేడు."

"తారీఖు?"

"తారీఖులు మీ బాయిల ఉంటయి. మాకేడియిరా?"

జనవరి ఒకటి అని రాసుకున్నాడు. అప్పటినుంచి లస్మవ్వకు మెయిళ్లు మొదలయ్యాయి. పవన్‌కుమార్ వాటిని తెలుగులో చదివి వినిపించేవాడు. వాళ్ల నాన్న కోస్తా నుంచి వచ్చి ఇక్కడ వ్యాపారం పెట్టిన మనిషి. కుర్రవాడి మాటలో 'అండి' ఎక్కడికీ పోలేదు.

"మామ్మగారూ, మీ సైన్యం మీ కోసం ఎదురుచూస్తోందటండి!"

"బువ్వ తిని వస్తనని చెప్పు బిడ్డా."

నా పేరు వాడటానికి మాత్రం వీల్లేదన్నాను. వ్యక్తి స్వేచ్ఛ మీద సెమినార్‌లో వ్యాసం చదివి వచ్చినవాణ్ణి. మా బావ దొంగ ఖాతాకు నా పుట్టినతేదీ ఇస్తానా?

తెలంగాణ ఖాయమని తేలిన రోజుల్లో కొన్ని కంపెనీలు ట్రయళ్లే ఎత్తేశాయి. బదులుగా శుక్రవారం నుంచి ఆదివారం దాకా ఆట తలుపులు బార్లా తెరిచి, తర్వాత మూసేసేవి. "రాష్ట్రం కూడా ముందు ట్రయల్ తీసుకుంటారా ఎల్లేశం గారూ?" అన్నాడు పవన్. "గది ఫుల్ వర్షన్ తమ్మీ," అన్నాడు బావ, తెర మీంచి కళ్లు తిప్పకుండానే.

అలాంటి ఒక శుక్రవారం లస్మవ్వ ఖాతాలో ఒక ఆట తెరుచుకుంది. రెండు గుట్టలు. చెరొక గుట్ట మీద ఒక ఫిరంగి. కోణం చూసుకుని, బలం చూసుకుని, మౌసు ఒక్కసారి నొక్కాలి. ఒకరి తర్వాత ఒకరు. ఉరుకులు పరుగులు లేవు. కంప్యూటర్‌తో పోరాడితే కోటలు గెలుచుకుంటూ పోవచ్చు, పక్కన మనిషి కూర్చుంటే వాడితోనే తలపడవచ్చు. కుడిచెయ్యి వాడుకోమని చెప్పి బావ సాయంత్రం దాకా పవన్‌తో ఆడాడు. ఎడమచేత్తో గెలిచాడు. మళ్లీ గెలిచాడు.

"గిది పనికొస్తది," అన్నాడు.

ఆ మాట ఆయన నోట వినడం పవన్‌కు అదే మొదటిసారి.

శనివారం అక్క నాకు ఫోన్ చేసింది. "మీ బావకు దిమాగ్ ఖరాబైందిరా. రేపు ఐతారం డ్యూటీ, రెండింతల జీతం. వద్దన్నడు. ఊరికె వచ్చిన ఆట కోసం!" పిసినారి మనిషి జీతం వదులుకున్నాడంటే దవాఖానకు తీసుకుపోవాల్సిన విషయమే. ఆదివారం పొద్దున్నే బస్సెక్కి వచ్చాను. బావ నన్ను వెంటబెట్టుకుని తిన్నగా రాజం తలుపు కొట్టాడు.

రాజం తలుపు సగమే తెరిచాడు. "ఏంది?"

"ఏంలేదు. కాలనీల నన్ను గెలిచేటోడు లేడు. ఎడమచేత్తోని అందరిని కొడుతున్న. మొనగాన్ని నేనే అని చెప్పి పోదామని వచ్చిన."

"నువ్వా? మొనగానివా?" రాజం మొహంలో ఏళ్ల తర్వాత కోపం కాని కోపం కనిపించింది. "నీ బతుకుల రెండో లెవల్ జూసినవా ఎల్లిగా?"

"నువ్వు జూసినవు గదా. అయినా తలుపేసుకున్నవ్. మొనగాడెవడు మరి?"

తలుపు పూర్తిగా తెరుచుకుంది. రాజం చెప్పులేసుకున్నాడు.

మూల కంప్యూటర్ దగ్గర మౌసు ఎడమవైపే ఉంది. కుర్రాడొకడు ఎడమచేత్తో చాయ్ అందించాడు, రాజం ఎడమచేత్తో అందుకున్నాడు, పక్కవాళ్లంతా ఎడమచేత్తోనే తాగుతున్నారు. రాజం ఒక్కొక్కరినీ చూశాడు. మొదటి ఆట ఓడాడు. "ఇంకోటి," అన్నాడు. అదీ ఓడాడు. మూడో ఆటలో గుండు గాల్లో గుండ్రంగా లేచి సరిగ్గా బావ ఫిరంగి నెత్తిన పడింది.

"ఎల్లిగా, నీ దుకాణం మూసుకో!"

సెంటర్ ఊగిపోయింది. రాజం మాత్రం చప్పున బావ జేబు వైపు చూశాడు. "గా కుడిచెయ్యి బయటికి తియ్యి. నా మీద దయ జూపెట్టినవనుకో, మౌసుతోనే కొడ్త. ఎప్పటిసంది ఎడమచేత్తోని ఆడుతున్నవ్?"

"మొన్నటిసంది."

"అబద్ధమండి," అన్నాడు పవన్. "ఏళ్లయింది. మీకు దెబ్బ తగిలిన నెలలోనే మౌసు ఇటు పెట్టించారు. ఎడమచేత్తో రెండు చేతులవాణ్ణి గెలిచే ఆట దొరికేదాకా ఇంకే ఆటా పనికిరాదట!"

"ఎవలన్నరు? ఊరికె వచ్చినయి ఆడిన. గంతే," అని బావ గోడ వైపు తిరిగాడు.

"కుడిచేత్తోని ఆడు," అన్నాడు రాజం. బావ కుడిచెయ్యి తీశాడు. మొదటి గుండు తన గుట్ట మీదే వేసుకున్నాడు. రెండోది ఆకాశంలోకి పోయి తిరిగిరాలేదు. అన్నేళ్లు జేబులో కూర్చున్న చెయ్యి అన్నం కలపడం తప్ప అన్నీ మరిచిపోయింది. రాజం పొట్ట పట్టుకుని నవ్వాడు.

"పెట్టుకో పెట్టుకో, జేబులనే పెట్టుకో. నీకు అదే నయం!"

సాయంత్రం రాజం ఒంటరిగా కోటల మీద పడ్డాడు. ఒక్కొక్కటీ కూలుస్తూ పోతుండగా తెర మసకబారింది. ఉచిత సమయం ముగిసింది, కొనండి. గోడ కూలబోతున్న చోటే ఆగిపోయింది. రాజం మౌసు వదిలి లేవబోయాడు. ఆ లేవడం చూస్తే, ఇంటికి పోయి మళ్లీ తలుపేసుకునేట్టే ఉన్నాడు.

బావ కుడిచెయ్యి మెల్లగా జేబులోంచి బయటికొచ్చింది. ఈసారి నోట్లతో.

"పవన్, నీ కార్డు మీద కొను," అన్నాడు గొంతు తగ్గించి, ఎవరైనా విని పరువు తీస్తారేమోనన్నట్టు. "సంధ్యకు చెప్పకు."

పవన్ కార్డు తీశాడు. రాజం మళ్లీ కూర్చున్నాడు.

తర్వాత రోజూ వచ్చాడు. ఆఖరి కోట కూలేరోజు నేనూ ఉన్నాను. బావ తన జీవితంలో ఒక ఆట ముగింపు చూడటం అదే మొదటిసారి. లోపల రాజే ఉన్నాడు. వాణ్ణి చంపారు. తెర మీద "అభినందనలు లస్మవ్వా" అని పడి, తర్వాత పేర్లు పైకి పాకడం మొదలుపెట్టాయి.

"వీళ్లందరెవలు?"

"ఆట తయారుచేసినవాళ్లు బావా."

"గింతమందా?" బావ చాలాసేపు చూశాడు. "గింతమందిల ఒక్కడన్న మొత్తం ఊరికె ఇద్దామనలేదాయె!"

రాజం కుర్చీలో వెనక్కి వాలి, ఎడమచేత్తో చాయ్ అందుకున్నాడు. "ఇంకేం ట్రయళ్లున్నయి పవన్?"

"ఒకటి ఉందండి. కానీ కాలనీలో పేర్లన్నీ అయిపోయాయి. కొత్త పేరు కావాలి."

బావ నా వైపు తిరిగాడు. వ్యక్తి స్వేచ్ఛ మీద నేను చదివిన వ్యాసం చివరి పేజీతో సహా గుర్తొచ్చింది.

"బామ్మర్దీ," అన్నాడు, "నీ పుట్టిన తారీఖెంతరా?"

చెప్పేశాను.