పెళ్లిమండపం ముందు తెగిన గీత

రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో మదనపల్లెలో బస్సులకని రోడ్డు మీద వేరే దారి గీయించారు. బస్టాండు గేటు దగ్గర మొదలై, కాస్త ఉత్తరానికి వాలుతూ తూర్పున నాలుగురోడ్ల కూడలి దాకా, ఆరువందల మీటర్లు. ఎవరో పై అధికారి బెంగళూరు వెళ్లి చూసి వచ్చాడు. బెంగళూరులో చూసిందల్లా మదనపల్లెలో పెట్టించాలనుకోవడం మా వైపు అధికారులకి పాత జబ్బు. టమాటా బుట్టలు మోసే ఆటోలు, రోడ్డు మధ్యలో నిలబడి యోగక్షేమాలు విచారించుకునే పెద్దమనుషులు, ఎవరివో తెలియని ఆవులు. వీటన్నిటి మధ్యా ఒక పసుపు గీత గీస్తే అందరూ తప్పుకుని బస్సుకి దారి ఇస్తారని ఆయన నమ్మాడు. ఊళ్లో ఒక్క పూట కూడా నడవనివాడికే అంత నమ్మకం ఉంటుంది.

నేనప్పుడు ఆ పని చేయించే ఆఫీసులో వర్క్ ఇన్‌స్పెక్టరుని. పేరు పెద్దది. పని మాత్రం, కాంట్రాక్టరు చేసేది పక్కన నిలబడి చూసి, సరిగా ఉందని సంతకం పెట్టడం. మా తాత బతికి ఉంటే కాంట్రాక్టరనేవాణ్ణి అరుగు ఎక్కనిచ్చేవాడు కాదు. పుంగనూరు పక్కన మాకు ఒకప్పుడు మూడూళ్లు ఉండేవి. అవి దానధర్మాల్లో కరిగిపోయాయని మా పెద్దమ్మ చెబుతుంది. కోర్టుల్లోనూ పేకాటలోనూ పోయాయని నేను చెబుతాను. పోనివి రెండే. మా నడుము వంగదన్న పేరు, మా మాట మీద హద్దు తేలుతుందన్న పేరు.

ఆ రెండోది వట్టి గొప్ప కాదు. గట్టు తగాదా తేలకపోతే చుట్టుపక్కల రైతులు మా తాతని పిలిచేవాళ్లు. ఆయన తడిబట్టలతో, ఆ పొలంలోని మట్టిపెళ్ల తలమీద పెట్టుకుని హద్దు వెంట నడిచేవాడు. ఆయన అడుగు పడినచోట రాయి నాటేవాళ్లు. మట్టి నెత్తిన పెట్టుకుని అబద్ధం నడిస్తే ఆ ఇల్లు మట్టిలో కలుస్తుందని అందరి నమ్మకం. మా ఇల్లు మట్టిలో కలిసిన మాట నిజమే కాని, కారణం అది కాదు.

బస్సుల దారి ఎలా గీయాలో చెప్పే నియమాలు ఇంగ్లీషులో పదకొండు పేజీలు వచ్చాయి. ఆఫీసులో వాటిని చివరిదాకా చదివినవాణ్ణి నేనొక్కణ్ణే. మిగతావాళ్లు వాటిమీద టీ గ్లాసులు పెట్టుకున్నారు. అందులో కష్టమైన సంగతేమీ లేదు. రోడ్డుకి ఎడమవైపు బస్సు పట్టేంత వెడల్పు వదిలి, దాని కుడి అంచున లావుపాటి పసుపు గీత గీయాలి. గీత తెగకుండా ఉన్నంతమేరా ఆ దారి బస్సుదే. ఇంకే బండీ దాన్ని దాటకూడదు. పక్కవీధి వచ్చి కలిసేచోట మాత్రం గీతని ముక్కలు ముక్కలుగా గీయాలి. అక్కడ వేరే బండ్లు దాటవచ్చు, బస్సే వేగం తగ్గించి చూసుకుని పోవాలి. అంతే. ఎద్దుకి చెప్పినా తలూపుతుంది.

మా రోడ్డులో కలిసే పక్కవీధి ఒక్కటే, ఆస్పత్రి వీధి. బస్టాండు నుంచి కొలిస్తే రెండువందల మీటర్లకి వస్తుంది. అక్కడ ముప్పై మీటర్లు ముక్కల గీత, మిగతాదంతా తెగని గీత. పటం నేనే గీశాను. కొలతలు తెలుగులో రాశాను, అడ్డంగా చదివినా అర్థమయ్యేలాగ. నిలువుగా తిరగేసి చదువుతారని నాకు తోచలేదు.

కాంట్రాక్టరుకి మెడలో రెండు గొలుసులు, జేబులో పంచాంగం. పటం చేతికివ్వగానే మొదట అడిగింది కొలతలు కాదు.

“మొదలు బస్టాండు కాడనా? అది నైరుతి కదా సామీ. నైరుతిలో ఎత్తుకున్న పని యాడన్నా ముగిసిందా? ఈశాన్యం నుంచి రావాల.”

“రోడ్డుకి ఈశాన్యమేమిటయ్యా?”

“ఇంటికి ఉంటే రోడ్డుకి ఉండదా సామీ? మీరు పెద్దింటోళ్లు, మీకు సెప్పాల్నా?”

ఎక్కడ మొదలుపెట్టినా పటంలో ఉన్నట్టే గీయాలన్నాను. “పటం యాడికి పోతాది సామీ” అని మడిచి పంచాంగంలో పెట్టుకున్నాడు.

మంచి గడియ తెల్లవారకముందే ఉందని నాకు చెప్పలేదు. నేను ఏడింటికి వెళ్లేసరికి కూడలి దగ్గర కొబ్బరిచిప్పలు పడి ఉన్నాయి. గీత సగం రోడ్డు దాటి వచ్చేసింది. వాళ్లు కూడలి చివరనుంచి టేపు పెట్టి, పటంలో మొదట రాసినదాన్ని మొదట గీశారు. రెండువందల మీటర్లు తెగని గీత, ముప్పై మీటర్లు ముక్కలు, తర్వాత మళ్లీ తెగని గీత. అంటే పటం మొత్తం తిరగబడింది. ముక్కల గీత వచ్చి ఒక పెళ్లిమండపం ముందు పడింది. ఆ మండపానికి బండ్ల గేటు వెనక వీధిలో ఉంది, ఈ రోడ్డు మీదికి ఏ బండీ రావలసిన పనిలేదు. నిజంగా బండ్లు వచ్చే ఆస్పత్రి వీధికి మాత్రం కాసేపట్లో అడ్డంగా తెగని గీత పడబోతోంది. నియమం ప్రకారం ఆ వీధిలోకి పోయిన రోగి మళ్లీ బయటికి రాకూడదు.

అంతలో అక్షరాలు రాసేవాడు దారి మధ్యలో “బస్సు” అని రాస్తున్నాడు. అంగళ్ల బోర్డులు రాసుకునే మనిషి. దూరంనుంచి వచ్చే డ్రైవరుకి సరిగా కనిపించాలంటే అక్షరాలు బాగా సాగదీసి పొడుగ్గా రాయాలని నియమం. చెప్పాను.

“అంత పొడుగు రాస్తే నా పెండ్లాం గూడా నవ్వుతాది సామీ. అచ్చరమంటే తామరపూవు మాదిరి ఉండాల” అని గుండ్రంగా రాసి, ఎర్రరంగుతో నీడ కూడా దిద్దాడు. బస్సులో కూర్చుని చూస్తే ఎవరో తొక్కేసిన లడ్డులా కనిపించేది.

చెరిపి మళ్లీ గీయమన్నాను. “పసుపు పడినాక తుడిసేది అశుభం సామీ” అన్నాడు కాంట్రాక్టరు. పదింటికి మండపం యజమాని అందరికీ ఇడ్లీలు పంపాడు. తన మండపం ముందు గీత తెంపించింది మా ఇంజనీరు తనమీద గౌరవంతోనే అనుకున్నాడు. ఆ గౌరవం తనదేనని ఇంజనీరు కూడా ఒప్పుకున్నాడు. చెయ్యని తప్పుకి మెప్పు వస్తే కాదనే మనిషిని ఆ ఆఫీసులో నేను చూడలేదు.

“సంతకం పెట్టేయండి. ఈ ఊళ్లో గీత చదివేవాడెవడు?” అన్నాడు ఇంజనీరు.

పెట్టాను. పటం ప్రకారం పని జరిగిందని రాసి, కింద మా ఇంటిపేరుతో సహా సంతకం పెట్టాను. ఆ రోజు నన్ను వాళ్లలో ఒకడిగా అనుకోలేదు. వాళ్లని తక్కువగా చూస్తున్నాను కాబట్టి వాళ్లకంటే పైన ఉన్నానని అనుకున్నాను. ఇప్పుడు అలా అనుకోను.

నాలుగైదు నెలలకి జరగవలసింది జరిగింది. ముక్కల గీత చూసి పెళ్లివాళ్లు స్కూటర్లన్నీ మండపం ముందే ఆపడం అలవాటు చేసుకున్నారు. ఒక ముహూర్తం రోజున పెళ్లికొడుకు తరఫు మనిషి ఒకాయన తాంబూలం నములుతూ, వెనక్కి చూడకుండా స్కూటరు బస్సుల దారిలోకి తిప్పాడు. తంబళ్లపల్లె బస్సు గుద్దింది. ఆయనకి కాలు విరిగింది. డ్రైవరుని సస్పెండు చేశారు. విచారణలో పాయింటు ఒక్కటే. ఆ చోట గీత తెగి ఉంది, కాబట్టి వేగం తగ్గించవలసింది డ్రైవరే, కాబట్టి తప్పు అతనిది. తప్పు ఖాయమైతే ఉద్యోగం పోతుంది.

ఆ డ్రైవరు ఒక మధ్యాహ్నం నేను అద్దెకున్న గదికి వచ్చాడు. నాకు తెలిసినవాడే, మా ఊరివాడు. వాళ్ల నాయన మా కళ్లంలో చెనిక్కాయలు కొట్టేవాడు. కొడుకు ఖాకీ చొక్కా తొడుక్కుని ఊళ్లో మిద్దె కట్టాడు. నేను బస్సెక్కితే నన్ను గుమాస్తాలందరినీ పిలిచినట్టే “సార్” అని పిలిచేవాడు. “సామీ” అనకపోవడం నాకు ప్రతిసారీ గుచ్చుకునేది. కూర్చోమని నేను అనలేదు. అతనే కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

“ఆ గీతకి సంతకం పెట్టింది మీరేనంట కదా సార్?”

“అయితే?”

“బస్టాండు కాడ్నుంచి అడుగులేసి కొలిసినా. కూడలి కాడ్నుంచి గూడా కొలిసినా. ఈ పక్కనుంచి ఆస్పత్రి వీధి ఎంత దూరమో, ఆ పక్కనుంచి మండపం అంతే దూరం. పటం తిరగేసి గీసినారు సార్. అవునా, కాదా?”

ఊరంతటికీ, ఇంజనీర్లతో సహా, కనిపించని సంగతి ఒక్క మనిషి తన కాళ్లతో కొలిచి తెలుసుకున్నాడు. ఆ మాట మెచ్చుకోవలసింది. నా నోట వచ్చింది వేరు.

“మీ నాయన మా కళ్లంలో పనిచేసేవాడు. తెలుసా నీకు?”

“తెలుసు సార్. ఆ కళ్లం ఇప్పుడు యాడుండాది?”

అతనే చెప్పాడు. “ప్లాట్లేసినారు. నేను దినామూ ఆ పక్కనే బండి తోల్తాండా.” మళ్లీ తనే అన్నాడు. “నేను దానమడగతా లేదు సార్. మీ పటం మీ కాడ ఉండాదా, లేదా? ఉంటే ఇచారణకి తెచ్చి సూపించండి. ఈ ఉద్దోగం పోతే నాకు మళ్లా రాదు.”

బతిమాలలేదు. కాళ్లు పట్టుకోలేదు. పట్టుకుని ఉంటే, నిజం చెప్పాలంటే, నాకు సులువుగా ఉండేది. కాదని పంపేసేవాణ్ణి.

విషయం ఆఫీసులో తెలిసింది. ఇంజనీరు నన్ను పిలిచి తలుపు వేశాడు. “వాడు మీకేమవుతాడని పోతారు? గీతలు గీసేది మన పని. గుద్దుకునేది వాళ్ల పని” అన్నాడు. ఆ వాక్యం తనే విని మురిసిపోయి, రెండోసారి కూడా అన్నాడు. ఆ మనిషి ఎదురుగా నిలబడి విచారణ రోజుకి సెలవు చీటీ రాసి ఇచ్చాను.

విచారణ డిపోలో ఒక రేకుల గదిలో. విచారణ అధికారి పొడిదగ్గు మనిషి. నా దగ్గర ఉంచుకున్న పటం నకలు పరిచి చూపించాను. ఆయన దాన్ని చూసి, నేను సంతకం పెట్టిన కాగితం పక్కన పెట్టాడు.

“ఇది మీ సంతకమేనా?”

“నాదే.”

“పటం ప్రకారమే గీశారని అప్పుడు రాశారు. ఇప్పుడు కాదంటున్నారు. మిమ్మల్ని ఏ రోజు నమ్మమంటారు?”

“ఈ రోజు. ఆ రోజు నేను అబద్ధం రాశాను.”

డ్రైవరు మూల బెంచీమీద కూర్చుని గోడకేసి చూస్తున్నాడు. మా వంశంలో నలుగురి ముందు ఆ మాట అన్నవాళ్లలో నేనే మొదటివాణ్ణి అయ్యుంటాను. అంతకు ముందువాళ్లకి అవసరం పడలేదో, లేక ధైర్యం చాలలేదో నాకు తెలియదు.

“ఆయన మీ బంధువా?”

“మా ఊరివాడు. అంతకంటే ఏమీ కాదు.”

“రాసివ్వండి” అన్నాడు. రాసిచ్చాను. అయినా ఆయనకి నమ్మకం కుదరలేదు. ఒకసారి అబద్ధం రాసినవాడు రెండోసారి రాయడా? ఆ అనుమానంలో తప్పు లేదు. టేపు తెప్పించి మమ్మల్నందరినీ రోడ్డు మీదికి తీసుకెళ్లాడు.

టేపు పట్టిన చోట జనం చేరడానికి మదనపల్లెలో నిమిషం చాలు. కొలతలు నా పటంతో కూడలి వైపునుంచి సరిపోయాయి, బస్టాండు వైపునుంచి సరిపోలేదు. ఎవరో కబురు పెడితే కాంట్రాక్టరు మోటారుసైకిలు మీద వచ్చాడు. గొలుసులు సర్దుకుని, తన పనికి మచ్చ వస్తోందని గట్టిగా మొదలుపెట్టాడు.

“గీతలో దోసమేముండాది సార్? పటంలో ఏముండాదో అదే గీసినాం. నేనే ముందర నిలబడి, టెంకాయ కొట్టి, ఈశాన్యం నుంచి ఎత్తుకున్నా. కావాలంటే పంచాంగం సూడండి!”

“ఏ చివరనుంచి?” అన్నాడు అధికారి, దగ్గు ఆపి.

“అద్దో, కూడలి కాడ్నుంచి.” చెయ్యి చాచి గర్వంగా చూపించాడు.

అధికారి రాసుకున్నాడు. నా ఒప్పుకోలు తేల్చలేనిదాన్ని ఆ మూర్ఖుడి గొప్ప తేల్చింది. ఇది నాకు ఇప్పటికీ మింగుడుపడదు. నేను నా పరువు తీసి బల్లమీద పెడితే అనుమానించినవాళ్లు, వాడి టెంకాయని సాక్ష్యంగా తీసుకున్నారు.

రెండు వారాలకి డ్రైవరుని మళ్లీ ఉద్యోగంలోకి తీసుకున్నారు. నాకు ఒక ఇంక్రిమెంటు ఆపి, కుప్పానికి బదిలీ చేశారు. ఇంజనీరుకి ఏమీ కాలేదు. కాంట్రాక్టరుకి ఆ గీత దిద్దే పని కూడా ఇచ్చారు. ఎవరి మనసూ నొప్పించకుండా వాడు ఆరువందల మీటర్లూ ముక్కల గీతే గీశాడు. ఆ తర్వాత అది అందరి దారీ అయింది, అంటే ఎప్పటిలాగే ఎవరి దారీ కాకుండా పోయింది. కుప్పంలో ఒకటి రెండేళ్ల పాటు కొత్తగా వచ్చిన ప్రతివాడూ నన్ను చూసి, “అబద్ధం సంతకం పెట్టిందాయన ఈయనేనంట” అని చెవులు కొరుక్కునేవాడు. రెండోసారి రాసిచ్చిన నిజం సంగతి ఎవడూ ఎత్తేవాడు కాదు.

నేను పెట్టె కట్టుకుంటున్న సాయంత్రం డ్రైవరు వచ్చాడు. డిపో ఇచ్చిన ఉత్తర్వు జేబులోంచి తీసి ఇచ్చాడు. చదివాను. రోడ్డు గీత తప్పుగా గీసినందున డ్రైవరు దోషి కాడని ఉంది. మడిచి ఇచ్చేశాను. దాన్ని మళ్లీ జాగ్రత్తగా జేబులో పెట్టుకుని గుండీ పెట్టుకున్నాడు. మీ మేలు మరువనని, మీరు దేవుడని, అలాంటి మాట ఒక్కటీ అనలేదు. అని ఉంటే నేను వాణ్ణి కూడా ఆ ఊరివాళ్లందరి లెక్కలో కలిపేసేవాణ్ణి.

“కుప్పానికి ఎప్పుడు పోతాండారు సార్?”

“రేపు.”

“పదిగంటల బండికి పోవద్దండి, పలమనేరులో సంత జనం ఎక్కుతారు. ఆరుగంటల బండికి పోండి. ముందర సీట్లో కూసోండి. వి.కోట దాటినాక రోడ్డు బాగలేదు, ఎనకాల కూసుంటే నడుము ఇరుగుతాది.”

లేచి చెప్పులు వేసుకున్నాడు. మెట్ల దాకా వెళ్లి దిగాడు. మరునాడు నేను ఆరుగంటల బండికే వెళ్లాను.