గోనెపట్టా వెనక దబ్బనం

మొన్న ఆదివారం మధ్యాహ్నం గడప దగ్గర కూర్చుని బియ్యంలో రాళ్ళు ఏరుతుంటే, మా మనవరాలు పక్కన చేరి ఫోనులో తుపాకుల ఆట మొదలుపెట్టింది. ఆ ఆట ఎవరైనా ఊరికే ఆడుకోవచ్చట, పైసా అక్కర్లేదట, కానీ మంచి తుపాకీ కావాలన్నా ఒంటి మీదకు గట్టి కవచం కావాలన్నా మాత్రం కొనుక్కోవాలట. వాళ్ళ నాన్న, అంటే మా కొడుకు, కొనివ్వనని కసిరాడు కనుక ఇప్పుడు నా మోకాళ్ళ మీద వాలింది. నాకు ఆ ఆట ఒక్క ముక్క అర్థం కాదు, ఆ ఠాయ్ ఠాయ్ చప్పుడు వింటే ఒళ్ళు మండుతుంది. కొనకుంటే ఏమవుతుందే అని అడిగాను. మొదటి వారమంతా తాను ఎదురొచ్చినవాణ్ణల్లా పడగొట్టిందట, ఇప్పుడేమో అడుగు పెట్టగానే ఎవరో ఒకరు తనను కొట్టేస్తున్నారట, వాళ్ళవన్నీ కొన్న తుపాకులట. పొయ్యి దగ్గర నుంచి మా కోడలు నవ్వి, కొత్తగా చేరినవాళ్ళ మీదకు మొదట్లో మనుషులను కాదు, ఆట తయారుచేసినవాళ్ళే ఉత్త బొమ్మలను పంపుతారని, గెలుపు రుచి మరిగాక అసలు ఆటగాళ్ళ మధ్య పడేస్తారని చెప్పింది. నా చేతిలో చేట అలాగే ఆగిపోయింది.

ఆ సంగతి మా కోడలికి ఎవరు చెప్పారో గాని, నాకు నలభై ఏళ్ళ కిందే తెలుసు.

మన ఈడువాళ్ళు, బొంబాయి కామాటిపుర గల్లీల్లో తిరిగినవాళ్ళు ఎవరైనా ఇది చదువుతుంటే, ఫోరస్ రోడ్డు మొగదల ఉండిన బందూకుల దుకాణం గుర్తుకొచ్చే ఉంటుంది. దుకాణమంటే నాలుగు గుంజలు, మీద తాటిపత్రి, వెనక నల్ల రంగు వేసిన చెక్క పలక, దాని నిండా వరుసలుగా గాలి నింపిన రబ్బరు బుగ్గలు, పలక వెనక ఒక గోనెపట్టా తెర, అంతే. దుకాణం ఆయన ‘పహలా నిషానా ఫుకట్’ అని సాయంత్రమంతా గొంతు చించుకునేవాడు, మొదటి దెబ్బ ఊరికే అన్నమాట. ఊరికే వచ్చేదాన్ని వద్దనేవాడెవడు? ఊరి నుంచి దిగి నెల తిరగని మన పాలమూరు పిల్లలు, ఒంటి మీది సిమెంటు దుమ్మైనా దులుపుకోకుండా వచ్చి, పుట్టి బుద్ధెరిగి పట్టని బందూకును భుజానికి ఆనించి మీట నొక్కేవారు. బుగ్గ ఫట్టుమనేది. వాడి మొహం చూడాలి అప్పుడు! ఇక రెండో దెబ్బ నుంచి ప్రతి దెబ్బకూ పైసలు పెట్టాలి, అవన్నీ పోయి చెక్కకు తగిలేవి, మొదటిది తగిలింది గదా ఇది ఎందుకు తగలదన్న పంతం కొద్దీ జేబు ఖాళీ అయ్యేదాకా కొట్టేవారు. పైసలు పెట్టి కొట్టినవాళ్ళకు దువ్వెనో, పీకో, తగరపు అంచున్న గుండ్రటి అద్దమో బహుమానంగా ఉండేది. ఊరికే కొట్టినవాళ్ళకు పేరొక్కటే దక్కేది.

మా ఆయన కూడా అలా పాలమూరు నుంచి గుంపుతో వచ్చినవాడే. మేము ముత్తాతల నాటి నుంచి కామాటిపురలో ఉన్నవాళ్ళం, నేను అక్కడి మునిసిపాలిటీ తెలుగు బడిలో ఏడు దాకా చదివాను, అందుకని కొత్తగా దిగిన కూలివాడికి పిల్లనిస్తారా అని మా అమ్మ తరఫువాళ్ళు మూతి విరిచారు. మా నాన్న మాత్రం ఆయన గిలాబు చేసిన, అంటే సున్నం పూసి నున్నగా తీర్చిన గోడ ఎక్కడుందో కనుక్కుని పోయి, దాని మీద అరచేత్తో నిమిరి చూసి వచ్చి, మరి మాట్లాడకుండా లగ్గం పెట్టించాడు. గోడ నిలువుగా లేచిందో లేదో చూడడానికి దారానికి కట్టిన ఇనుప గుండును వేలాడదీసి, ఎడమ కన్ను మూసి, కుడి కంటితో చూసేవాడు మా ఆయన. ఆ చూపే బందూకు మీదా పెట్టాడు. మొదటి దెబ్బ తగిలింది, రెండోదీ తగిలింది, ఆ తరువాత తగలనిదంటూ లేదు.

దుకాణం ఆయన గడుసువాడు. ఈ మనిషి పైసలు పెట్టి కొడితే బహుమానాలన్నీ ఎత్తుకుపోతాడు, ఊరికే కొట్టనిస్తే జనం మూగుతారు, మూగినవాళ్ళు పైసలు పెడతారు. అందుకని రోజూ పని దిగి వచ్చేటప్పుడు నీకు ఫుకట్ అన్నాడు. ఈయన పొంగిపోయాడు. నాకు ఆ గుండ్రటి అద్దం మీద మనసుండేది, ఒక్కసారి పైసలు పెట్టి కొట్టి అది తేరాదా అని గొణిగితే, ఊరికే కొట్టుమని బతిమాలుతుంటే పైసలు పెట్టెటోణ్ణి పిచ్చోడంటరే అని నవ్వేవాడు. నాకు కోపమూ వచ్చేది, జనం చప్పట్లు కొడితే గర్వమూ కలిగేది, అబద్ధమెందుకు.

దుకాణం ఆయన భార్య మా చాళ్ మనిషే, ఒకే వరుస గదుల ఇంట్లో ఉండేవాళ్ళం, తెలుగామె, నేను అక్కా అని పిలిచేదాన్ని. ఒకనాడు పొద్దున నల్లా దగ్గర వేలికి గుడ్డ చుట్టుకుని కనబడితే ఏమైందని అడిగాను. ఇటూ అటూ చూసి కిసుక్కున నవ్వింది. ఆ చెక్క పలకకు బుగ్గల వెనక సన్నని బెజ్జాలుంటాయట, కొత్తవాడు మొదటి దెబ్బ కొట్టే వేళకు మొగుడు దగ్గుతాడట, గోనెపట్టా వెనక కూర్చున్న ఈమె దబ్బనంతో బుగ్గను పొడుస్తుందట. ఆ రోజు తొందరలో వేలికి గుచ్చుకుంది. ‘అది తగులుడు కాదు చెల్లె, తగిలించుడు’ అంది. వెంటనే నా మొహం చూసి, ‘మీ ఆయనకైతే ఒక్కనాడు పొడువలే, ఒట్టు’ అని నెత్తి మీద చెయ్యి పెట్టుకుంది. అప్పటి నుంచి నా చెవికి తేడా తెలిసేది. నిజంగా తగిలితే బుగ్గ చప్పుడూ చెక్క చప్పుడూ కలిసి ఒక్కటిగా వినిపిస్తాయి. దబ్బనమైతే ముందు చెక్క టక్కుమంటుంది, రెప్పపాటు ఆగి బుగ్గ ఫట్టుమంటుంది.

ఆ ఏడు వానలు వెనకబట్టాక మా గుంపు ఒక పాత చాళ్ మరమ్మతుకు కుదిరింది. ఆయన గిలాబు, నేను తట్టలు మోయడం, ఏడాది నిండని కొడుకు ఇంటి దగ్గర మా అత్త ఒళ్ళో. ఒకనాడు పీపాలో సున్నపురాళ్ళ మీద నీళ్ళు పోసి కర్రతో కలుపుతుంటే, కుతకుత ఉడుకుతున్న సున్నం ఒక ముద్ద ఎగిరి ఆయన కుడి కంట్లో పడింది. నేను నీళ్ళ చెంబు అందుకుని ఉరికాను. ‘నీళ్ళు పొయ్యకు, సున్నం ఉడుకుతది, కన్ను ఉడికిపోతది’ అని గుంపు గుంపంతా అరిచి నా చెయ్యి పట్టుకుని వెనక్కి లాగింది.

నవ్వాలో ఏడవాలో చెప్పండి. ఇంకో పని చేసుకునేవాళ్ళయితే ఆ తప్పు చేయరు, కంట్లో ఏది పడినా నీళ్ళతో కడుగుతారు. మేము సున్నంతో పుట్టి సున్నంతో బతికినవాళ్ళం, నీళ్ళు పడితే సున్నం ఏమవుతుందో మాకు తెలిసినంతగా ఎవరికి తెలుసు? ఆ తెలివే మా కొంప ముంచింది. ఆముదం పోశారు, చంటిబిడ్డ తల్లినని నా చేత పాలు పిండించారు, గుడ్డ కట్టారు, ఒక్క చుక్క నీళ్ళు మాత్రం తగలనివ్వలేదు. మర్నాడు దవాఖానాలో డాక్టరు రెప్ప తెరిచి చూసి, అక్కడ నీళ్ళే లేవా అని అడిగాడు. నిండు పీపా ఉండింది.

గుడ్డ విప్పాక కంటి నల్లగుడ్డు మీద తెల్లగా పువ్వు పడింది. తనకు బాగానే కనబడుతోందని ఆయన అందరితో చెప్పుకునేవాడు, కానీ నేను కుడి పక్క నుంచి గ్లాసు అందిస్తే చెయ్యి గాలిలో వెతికేది. గుంపు మేస్త్రి చెడ్డవాడు కాదు. ‘కండ్లు కనవడనోణ్ణి పైకెక్కిస్తే రేపు నీ పెండ్లానికి నేనేం జవాబు చెప్పాలెరా’ అన్నాడు. ఈయన రేగిపోయాడు. చివరకు మేస్త్రే ఒక దారి చెప్పాడు. ‘అట్లయితే బందూకుల దుకాణం కాడ చూపియ్. ఎడమ కన్ను మూసి కొట్టు. కొడితివా, సోమారం పరాంచీ ఎక్కు. లేకుంటే తట్టలు మొయ్యి.’ పరాంచీ అంటే వెదురు బొంగులు కట్టి పలకలు పరిచిన మెట్టు, దాని మీద నిలబడే గోడకు గిలాబు చేస్తారు. తట్టలు మోయడం నాకు చిన్నతనమనిపించలేదు, రోజూ నేను చేసే పనే అది. ఆయనకు మాత్రం తాపీ వదలడమంటే చావే. బందూకు గురి తప్పాలని, ఆయన కింద నా పక్కన తట్ట మోస్తూ బతకాలని ఆ రెండు రోజులూ మొక్కని దేవుడు లేడు.

ఆదివారం సాయంత్రం గుంపంతా ఫోరస్ రోడ్డుకు కదిలింది. దుకాణం ఆయన ఎప్పటిలాగే పైసలు వద్దన్నాడు. ఈయన బందూకు భుజానికెత్తి, ఎడమ కన్ను మూసి, చాలాసేపు గురి చూశాడు. ఏమి చూశాడో ఆ పువ్వు వెనక నుంచి, తెల్లటి మసకే చూసి ఉంటాడు. టక్కుమంది చెక్క. రెప్పపాటు ఆగి బుగ్గ పగిలింది. మళ్ళీ కొట్టాడు, మళ్ళీ టక్, మళ్ళీ ఆగి ఫట్. మూడోసారీ అంతే. గుంపు ఈలలు వేసింది, మేస్త్రి వచ్చి ఈయన వీపు చరిచాడు, దుకాణం ఆయన దగ్గు ఆపి మీసం దువ్వుకున్నాడు. నేను గోనెపట్టా వైపే చూస్తూ నిలబడ్డాను. ఈయన మొహం మాత్రం వెలిగిపోతోంది, ఊరి నుంచి దిగినవాడు మొదటి దెబ్బ కొట్టినప్పటిలాగే ఉంది.

ఇంటికి పోగానే చెప్పాను. దాచలేదు. నువ్వు కొట్టలేదు, తెర వెనక అక్క పొడిచింది, నేను చెవులారా విన్నానని చెప్పాను. ‘నేనే కొట్టిన’ అన్నాడు. కాదన్నాను. ‘నా కన్ను మంచిగైందంటే నీకు కండ్ల మంటెందుకే’ అని అన్నం పళ్ళెం తోసేశాడు. మర్నాడు తెల్లవారక ముందే మేస్త్రి ఉంటున్న ఖోలీకి పోయి ఆయన కాళ్ళ మీద పడ్డాను. ‘నేను కండ్లారా చూసిన గదమ్మా, మొగుడు పైకెక్కుతుంటే ఆడమనిషికి భయమే ఉంటది’ అని నన్ను లేపి పంపేశాడు. నల్లా దగ్గర దుకాణం అక్కను పట్టుకుని నిలదీశాను. ‘గింజుకుంటుండు చెల్లె, పానం ఆగలే. ఒక మొగోని పని పోగొట్ట బుద్ధి కాలే’ అని ఆమె ఏడ్చింది. మేలు చేశాననుకుంది, పిచ్చిది.

ఆ వారమంతా మా ఆయన నాతో మాట్లాడలేదు. సద్ది నేనే కట్టేదాన్ని, ఆయన తినేవాడు, పరాంచీ పక్కనే తట్ట ఎత్తి అందిస్తే నా మొహం చూడకుండా అందుకునేవాడు. పైన రెండు పలకల నడుమ కాలు పట్టేంత సందుండేది. దగ్గరా దూరమూ తెలియడానికి రెండు కళ్ళూ కావాలని, ఒంటి కంటికి సందూ పలకా ఒకటిగానే కనబడవచ్చని ఎప్పుడో ఏళ్ళ తరువాత ఒక డాక్టరమ్మ చెబితే తెలుసుకున్నాను. శుక్రవారం పొద్దున నేను కింద తట్టలో సున్నపు మాలు నింపుకుంటుంటే ముందు తాపీ వచ్చి నా పక్కన నేల మీద పడింది. తల ఎత్తేలోగా ఆయన పడ్డాడు. నా ఒళ్ళో పెట్టుకుని పిలిచాను, పిలుస్తూనే ఉన్నాను. అలిగినవాడు అలిగినట్టే పోయాడు, ఒక్క మాట మాట్లాడకుండా.

పదో రోజు దాటాక దుకాణం ఆమె వచ్చి, కొంగులో దాచి తెచ్చిన ఆ గుండ్రటి అద్దం నా చేతిలో పెట్టింది. ఊరికే. దాన్ని ఆమె ఎదుటే మోరీలోకి విసిరికొట్టాను. నోటికి వచ్చినన్ని శాపనార్థాలు పెట్టాను. ఆమె తల వంచుకుని అన్నీ విన్నది, ఆ మర్నాటి నుంచి చాన్నాళ్ళు నాకంటే ముందు నల్లా దగ్గరికి పోయి నా బిందె నింపి మా గడపలో పెట్టి పోయేది. కొంతకాలానికి ఆ దుకాణం ఎత్తేశారు, అక్కడ చీకటి గదిలో పెట్టెల్లో ఆడే వీడియో ఆటలు వచ్చాయి, వాళ్ళు ధారావి వైపు ఖోలీ చూసుకుని వెళ్ళిపోయారు. వెళ్ళేనాడు నేను ఆమె సామాను బండికెత్తాను. ఎందుకో తెలియదు, ఎత్తాను.

ఇప్పుడు ఆలోచిస్తే అనిపిస్తుంది, ఆనాటి మోసానికి ఒక మనిషి ఉండేది. నా భాష మాట్లాడేది, దబ్బనం పొడిచిన వేలికి గుడ్డ చుట్టుకునేది, తిడితే ఏడ్చేది. మా మనవరాలి చేతిలోని ఆ గాజు పలక వెనక ఎవరు కూర్చున్నారు? ఏ నల్లా దగ్గర పట్టుకుని నిలదీయను? ఊరికే ఇచ్చేవాళ్ళు అప్పుడూ ఉన్నారు, ఇప్పుడూ ఉన్నారు, కానీ వీళ్ళ మొహం ఎలా ఉంటుందో కూడా మనకు తెలియదు. మా కాలమే మంచిదని నేననను, ఏం మంచిది నా మొహం. తిట్టుకోవడానికి ఎదురుగా ఒక మనిషైనా ఉండేది, ఇప్పుడు అదీ లేకుండా పోయింది.

ఆదివారం నాడు ఇదంతా మనవరాలికి చెప్పలేదు. మీ అమ్మ చెప్పింది నిజమే, మొదటి వారం నువ్వు కొట్టలేదు, నీ చేత కొట్టించారు అన్నాను. ఫోను మీద నుంచి తల ఎత్తి, ‘నేనే కొట్టిన ఆజీ’ అంది. అయినా ఊరుకోలేదు, కాదే, కాదు అని గట్టిగానే అన్నాను, తుపాకీ కొనివ్వనని కూడా చెప్పాను. విసురుగా లేచి పోయింది. మూడు రోజులైంది, నాతో మాట లేదు. అన్నం పెడితే నా మొహం చూడకుండా పళ్ళెం అందుకుంటుంది. అందుకోనీ. ఎంతకాలం అలుగుతుందో అలగనీ, నా కళ్ళ ముందు నేల మీద తిరుగుతూ అలుగుతోంది, అంతే చాలు.