ఎడమచేతి కాజా

దసరాకు వారం ముందు జనగామలో ఒక రెడీమేడ్ దుకాణంలో తెల్లటి పొడుగు చేతుల అంగి కొన్నాను. ఇంటికొచ్చి కవరు విప్పగానే కొత్త బట్ట గంజి వాసన గుప్పుమన్నది. ఆ వాసనకు కొంచెం మిషన్ నూనె, కొంచెం సుద్దముక్క, ఇస్త్రీ పెట్టెలో రాజుకున్న బొగ్గుల వేడి కలిపితే మా బాపు వచ్చి ఎదురుగా నిలబడ్డట్టే. అంగిని తిరగేసి కాజాలు చూశాను. అది నాకు పాత అలవాటు. పెళ్లిలో కొత్త మనిషిని పరిచయం చేసినా ముఖం కంటే ముందు అంగి గుండీల మీదికే నా చూపు పోతుంది, మా ఆయన ఈ సంగతి పదిమందికి చెప్పి నవ్విస్తుంటాడు. ఈ అంగి కాజాలన్నీ ఒకేతీరుగా ఉన్నాయి, మిషన్ వేసినవి, వాటిలో ఎవరి చెయ్యీ లేదు. నా చిన్నతనంలో కాజా చూసి కుట్టిందెవరో చెప్పగలిగేవాళ్లు ఉండేవాళ్లు. అట్లా చెప్పగలగడం వల్లనే ఒక మనిషి చేతి పని పోయింది. ఈ అంగి ఆ మనిషి కోసమే కొన్నాను.

మాది నర్మెట్ట దిక్కు ఒక ఊరు. మా బాపు ఆ ఊరికి మేర, అంటే బట్టలు కుట్టే మనిషి. ఇంటి ముందు రేకులు దించి, దాని కింద మిషన్, కత్తిరించే బల్ల, గోడకు మేకులు, మేకులకు సగం కుట్టిన బట్టలు. మాకు కాలాలు తెలిసింది ఎండావానలతో కాదు, బల్ల మీద పడే బట్టతో. ఎండాకాలం పెండ్లి జాకెట్లు, బడులు తెరిచే ముందు నీలం లాగులు, వానలు తగ్గి తంగేడు పూసే వేళకు బతుకమ్మ కోసం ఆడపిల్లల లంగాలు, చలికాలంలో మా ఊరి క్రైస్తవుల ఇండ్ల నుంచి పండుగ గౌన్లు. తండా ఆడవాళ్లు వచ్చి తమలో తాము తమ భాషలో మాట్లాడుకుంటూ బాపు కొలత టేపును చూసి నవ్వేవాళ్లు. వాళ్ల రైకలు వాళ్లే కుట్టుకునేవాళ్లు, మగవాళ్ల అంగీలకు మాత్రమే మా గడప తొక్కేవాళ్లు. సద్దుల బతుకమ్మ నాడు మా అవ్వ, అంటే అమ్మ, నువ్వుల సద్ది, మలీద ముద్దలు చేస్తే, చేతికి నెయ్యి అంటిన పిల్లలను ఒక్కరినీ బల్ల దగ్గరికి రానిచ్చేవాడు కాదు బాపు. కాల్చిన మక్క కంకి పట్టుకుని వచ్చినవాళ్లను కూడా వాకిట్లోనే నిలబెట్టేవాడు.

బల్ల కింద రాలిన ముక్కలన్నీ మావి. వాటిని ఉండగా చుట్టి దారంతో బిగించి బంతులు చేసుకునేవాళ్లం, బొమ్మలకు చీరలు కట్టేవాళ్లం, వాటితో విసుగొస్తే కచ్చకాయలు ఆడేవాళ్లం. ఇంకో ఆట ఉండేది, అన్నలు పోలీసుల ఆట. కట్టెపుల్లలే తుపాకులు. పోలీసు కావడానికి ఎవరూ ఒప్పుకునేవాళ్లు కాదు గనుక ఆటకు ముందు అరగంట కొట్లాట ఉండేది, చివరికి అందరికంటే చిన్నవాడిని పోలీసును చేసి వాడు ఏడిస్తే ఆట ఆపేసేవాళ్లం.

ఆ ఆట మేం కనిపెట్టింది కాదు, చూసింది. అడవి నుంచి వచ్చే సాయుధులను ఊరు అన్నలు అనేది. వాళ్లు వచ్చి మీటింగు పెట్టి, దొర భూమి గురించి చెప్పి, పాట పాడి పోయేవాళ్లు. వాళ్లు పోయిన రెండో రోజో మూడో రోజో జీపుల్లో పోలీసులు వచ్చేవాళ్లు. ఎవరు వచ్చారు, ఎవరు అన్నం పెట్టారు, ఏం మాట్లాడారు అని అడిగేవాళ్లు. ఎవరు వచ్చినా మొదట అడిగేది మంచినీళ్లు. అవ్వ ఇద్దరికీ ఒకటే ఇత్తడి చెంబుతో ఇచ్చేది, ఇద్దరూ పైకెత్తి గటగట తాగేవాళ్లు, ఆ తర్వాత దాన్ని చింతపండు పెట్టి తోమి బోర్లించేది. ఒకరికి ఇచ్చి ఇంకొకరికి ఇవ్వకుండా బతికే దారి మా ఊర్లో ఏ ఇంటికీ లేదు. బస్సు రాని రోజులు, బడి తెరవని రోజులు, తలుపు తడితే తినే కంచం వదిలి లేచే రోజులు, వీటన్నిటి మధ్యే బాపు లాగులు కుట్టాడు, పెండ్లిళ్లు జరిగాయి, నేను ఐదో తరగతి పాసయ్యాను.

ఆ ఏడే కాజాలు కుట్టడం నేర్చుకున్నాను. నాది ఎడమచేతి వాటం. అవ్వకు అది పెద్ద తలనొప్పి, నలుగురిలో ఎడమచేత్తో ఏదైనా అందిస్తే వీపు మీద ఒకటి పడేది. బాపు మాత్రం పట్టించుకునేవాడు కాదు గాని, కుడిచేతి మనిషి ఎడమచేతి పిల్లకు సూది పట్టడం నేర్పలేక విసుక్కునేవాడు. నాకు నేర్పింది రాజలింగం మామ. పక్క ఊరి మేర, బాపుకు దోస్తు, అంగడి రోజు వచ్చి మా బల్ల మీద కూర్చుని చాయ తాగిపోయేవాడు. ఆయనదీ ఎడమచెయ్యే, చుట్టుపక్కల మేరలందరిలో ఆయన ఒక్కడిదే. "నా చెయ్యి నీకొచ్చింది బిడ్డా, ఇగ నువ్వు నా దుకాణానికే వారసురాలివి" అని మురిసిపోయేవాడు. మేమిద్దరం కుట్టిన కాజాల్లో ముడులు అందరి కాజాలకు ఎదురు దిక్కుకు వాలి ఉండేవి.

ఒక్క తేడా ఉండేది. కాజా పూర్తయ్యాక మామ ఒక ముడి వేసి దారం తెంపేవాడు. నేను చివర మూడు చుట్లు చుట్టి అప్పుడు తెంపేదాన్ని.

"గీ మూడు చుట్లు ఎందుకే? దారం దండుగ" అనేవాడు మామ.

"ఊడిపోతదని భయం మామా."

ఎన్నిసార్లు చెప్పినా నేను మారలేదు. ఆయన చెప్పడమూ మానలేదు.

సీతాఫలాల కాలంలో ఒక మధ్యాహ్నం గంప నెత్తిన పెట్టుకుని ఒకామె మా రేకుల కిందికి వచ్చింది. అవ్వ పండ్లు ఏరుకుంటుంటే ఆమె గంప అడుగున ఆకుల కింది నుంచి ఒక బట్టల మూట తీసి బల్ల కింద పెట్టింది. ముదురు ఆకుపచ్చ బట్ట. "ఆరు అంగీలు అన్నా, ఐదు దినాలకు వస్త" అని, కొలతలు రాసిన చీటీ బాపు చేతిలో పెట్టి, పండ్లో అని అరుచుకుంటూ వాడలోకి పోయింది.  కుట్టనంటే అన్నలతో తంటా, కుట్టిన సంగతి తెలిస్తే పోలీసులతో తంటా. చివరికి మిషన్‌ను లోపలి అర్రలోకి జరిపి, పైన ఎవరిదో పెండ్లి జాకెట్ పరిచిపెట్టి, దాని చాటున కుట్టాడు. సమయం లేక కాజాలు నాకిచ్చాడు. ఇవి ఎవరివని నేను అడగలేదు, ఆయన చెప్పలేదు. ఆ రోజుల్లో పిల్లలకు అడగకుండా ఉండడం నడక వచ్చినంత తొందరగా వచ్చేది. నాకు భయం కంటే గర్వమే ఎక్కువగా ఉండేదని ఒప్పుకోవాలి. ఎప్పుడూ లేనంత నీటుగా కుట్టాను, ప్రతి కాజాకు మూడు చుట్లు వేశాను.

చలికాలం వచ్చింది. అడవి దిక్కు ఎక్కడో కాల్పులు జరిగాయని, మనుషులు చనిపోయారని కబురు వచ్చింది. తర్వాత కొద్ది రోజులకు, చుట్టుపక్కల ఊళ్ల మేరలందరూ సూది దారంతో ఠాణాకు రావాలని పోలీసులు చెప్పిపోయారు. బాపు సద్ది కట్టించుకుని సైకిల్ మీద పోయాడు. అక్కడ బల్ల మీద చనిపోయినవాళ్ల అంగి ఒకటి పెట్టి ఉందట, ఒక్కొక్కరిని దగ్గరికి పిలిచి చూపించారట. తలా ఒక ముక్క ఇచ్చి కాజా కుట్టమన్నారట. పోలీసుల్లో ఒకాయన ఇంట్లో కుట్టుపని ఉండేదో ఏమో, ఆ అంగి కాజాలను వేలితో తడిమి, ఇది పుర్రచేతి మనిషి పని అన్నాడట.

సాయంత్రం బాపు ఒక్కడే వచ్చాడు. సైకిల్ గోడకు ఆనించడం మరిచిపోతే అది కింద పడింది.

"రాజలింగాన్ని ఉంచుకున్నరు" అన్నాడు అవ్వతో.

"ఎందుకు?"

బాపు నా ఎడమచేతి వంక చూశాడు. అవ్వకు అర్థమైంది. నాకూ అయింది. బాపు మళ్లీ చెప్పులు తొడుక్కుని, పోయి చెప్తా, కుట్టింది మేమేనని చెప్తా అని లేచాడు. అవ్వ దర్వాజకు అడ్డం నిలబడింది. "చెప్తే ఆయనను ఇడుస్తరా? నిన్ను ఆయన పక్కన కూసోబెడ్తరు. రేపు పిల్లను తెమ్మంటరు. అప్పుడేం జేస్తవ్?" బాపు కూర్చుండిపోయాడు. నేను పోతానని నేను అనలేదు. ఇంతకాలానికి రాస్తున్నాను కదా అని లేని ధైర్యాన్ని ఇప్పుడు అంటగట్టుకోను. దుప్పటి ముఖం మీదికి లాక్కుని పడుకున్నాను, అవ్వ పక్షమే వహించాను, నన్ను దాచినందుకు ఆమె మీద ప్రేమ కూడా కలిగింది.

రాజలింగం మామ పన్నెండు రోజుల తర్వాత ఇంటికి వచ్చాడు. ఎడమచేతి వేళ్లు వాచి ఉన్నాయి. దవాఖానలో కట్టు కట్టారు, కట్టు విప్పాక ఆ వేళ్లు మళ్లీ పూర్తిగా వంగలేదు. మిషన్ మూలకు చేరింది, ఆయన మేకలు కాసుకున్నాడు. ఎవరు కుట్టారో తెలియదనే చెప్పానని, అదే మాట రోజూ చెప్పానని ఊర్లో అన్నాడట. మా ఇంట్లో అవ్వ నా ఎడమచేతికి గుడ్డపేలిక చుట్టి కుడిచేత్తో సూది పట్టించింది. బడి నోటుబుక్కులో కూడా కుడిచేత్తోనే రాయాలన్నది. ఏడాదికి నా చెయ్యి మారింది. కాజాలు వదులుగా, వంకరగా వచ్చేవి, ఎవరూ ఏమీ అనేవాళ్లు కాదు.

బాపు ఆ తర్వాత ఎప్పుడూ ఆ మాట ఎత్తలేదు. కాని ప్రతి దసరాకు మామకు ఒక తెల్ల అంగి కుట్టి, తానే సైకిల్ మీద ఇచ్చివచ్చేవాడు. ఆ అంగి కాజాలు మామూలు వాటికంటే పెద్దవిగా కోసేవాడు, వంగని వేళ్లతో కూడా గుండీ దూరేట్టు. ఆ ఒక్క అంగి కాజాలు మాత్రం నాకు ఇచ్చేవాడు కాదు. అవ్వ పోయింది, తర్వాత బాపు పోయాడు. బాపు పోయాక వచ్చిన మొదటి దసరా ఇదే.

కాజాలు చిన్నవన్న సంగతి నాకు తట్టనేలేదు. పండుగ ముందురోజు మామ ఊరికి పోయాను. దారిలో అప్పట్లో పోలీసులు బస్సు ఆపి అందరినీ దింపి వెతికిన చోట ఇప్పుడు పెట్రోలు బంకు ఉంది. చనిపోయిన అన్నల పేరిట కట్టిన స్తూపం ఉన్న జాగాలో సగం విరిగిన దిమ్మె, దాని మీద కూర్చుని ఫోన్లు చూసుకుంటున్న పిల్లలు. వాళ్లలో ఇద్దరు మచ్చల మచ్చల ఆకుపచ్చ లాగులు తొడుక్కున్నారు, అంగట్లో వేలాడదీసి అమ్మేవి. ఎవరు కుట్టారని వాళ్లను అడిగేవాళ్లు లేరు. అడిగినా వాళ్లకు తెలియదు. సంతోషించాలో ఏమో నాకు తోచలేదు.

మామ వాకిట్లో కుర్చీలో ఉన్నాడు. అంగి తొడుక్కుని మొదటి గుండీ దగ్గరే ఆగిపోయి నవ్వాడు. "మీ బాపు అంగి గాదు గదా బిడ్డా." నాకు తల కొట్టేసినట్టయింది. అంగి విప్పించి, ఆయన కోడలిని అడిగి సూది, దారం, బ్లేడు తెప్పించి, మొదటి కాజాను కొంచెం పెద్దగా కోసి, కుడిచేత్తో కుట్టడం మొదలుపెట్టాను. ఆయన నా కుడిచేతిని తట్టాడు.

"గా చెయ్యి ఎందుకు? నీ చేత్తోటి కుట్టు."

సూదిని ఎడమచేతికి మార్చుకున్నాను. ఇన్నేండ్ల తర్వాత కూడా చెయ్యి ఏమీ మరిచిపోలేదు. ముడులు వాటంతట అవే ఎదురు దిక్కుకు వాలాయి. అంచు దాకా కుట్టి, ఒకప్పుడు ఆయన చెప్పినట్టే ఒక్క ముడి వేసి, కొరికి తెంపడానికి దారాన్ని పండ్ల దగ్గరికి తెచ్చాను. మామ తన ఎడమచేతిని నా చేతి మీద పెట్టి ఆపాడు.

"మూడు చుట్లు ఎయ్యలేదు."

తలెత్తి చూశాను. ఆయన నా వైపు చూడడం లేదు, దొడ్డిలో మేకల వైపు చూస్తున్నాడు.

"గా దినం ఠాణాల గా అంగిని చూస్తనే ఎరుకైంది బిడ్డా. నీ మూడు చుట్లే."

"మరి ఎందుకు చెప్పలేదు మామా?"

"పదేండ్ల పిల్ల పేరు ఎట్ల చెప్తరే?" అన్నాడు, అదేదో అడగకూడని వెర్రి ప్రశ్న అయినట్టు.

నాకు ఏడుపు ఆగలేదు. సూది జారి దారం ఊడిపోతే, బెజ్జం కనబడక, ఆయన కోడలే ఎక్కించి ఇచ్చింది. ఆ కాజాకు మూడు చుట్లు చుట్టాను, మిగతా వాటిని కూడా ఒక్కొక్కటే కోసి, ఎడమచేత్తోనే కుట్టి, అన్నిటికీ మూడేసి చుట్లు చుట్టాను. పొద్దు గూకేదాకా మామ పక్కనే కూర్చుని చూశాడు. దారం దండుగ అని మాత్రం ఈసారి అనలేదు.