మా బావ సంగీతం ఎవరూ వినకూడదు

మా బావ కట్టిన సంగీతం బాగుందని పొరపాటున ఎవరైనా అన్నారా, ఆ పూట ఆయనకి ముద్ద దిగదు. సినిమాలకీ టీవీ సీరియళ్ళకీ నేపథ్య సంగీతం కట్టడం ఆయన వృత్తి. "కథ చూడాల్సినవాడు నా సంగీతం విన్నాడంటే నేను అడ్డంగా దొరికిపోయినట్టేరా" అనేవాడు. ఇన్నేళ్ళలో ఆయన పేరు విన్నవాళ్ళు లేరు. ఆ సంగతి మాత్రం మహా గర్వంగా చెప్పుకునేవాడు.

మా అక్క ఒకసారి బట్టలు ఆరేస్తూ ఆయన కొత్త ట్యూను కూనిరాగం తీసింది. ఇంకో మొగుడైతే పొంగిపోయేవాడు. ఈయన చెప్పులు కూడా సరిగ్గా తొడుక్కోకుండా స్టూడియోకి పరిగెత్తి దాన్ని మార్చేసి వచ్చాడు. నిర్మాత ఒకాయన పదిమందిలో మెచ్చుకుంటే, ఎక్కడ తప్పు జరిగిందో చెప్పి తీరాలని ఆయన్ని పట్టుకుని వదల్లేదు.

నేను ఎడిటర్‌గా, ఆయన సంగీత దర్శకుడిగా పనిచేసిన ఒక సీరియల్లో నానమ్మ వేషం వేసే పెద్దావిడ ఉండేది. మంచి నటి. ఉన్నట్టుండి డైలాగులు మరిచిపోవడం మొదలైంది. మాట మధ్యలో ఆగి, ఎటో చూసి, మళ్ళీ అందుకునేది. ఆ ఖాళీలు కత్తిరిస్తే సీను అతుకుల బొంతలా తయారయ్యేది. దర్శకుడు విసిగిపోయి నానమ్మకి గుండెపోటు రాయించేశాడు. ఆ వేషం తప్ప ఆవిడకి వేరే లోకం లేదు. నాకు ప్రాణం ఉసూరుమంది.

బావ ఆవిడ అలా ఆగిపోయిన ఒక సీను కోయకుండా తనకిమ్మన్నాడు. ఆవిడ మాట ఆగినచోట సన్నగా వయొలిన్ మొదలై, మాట అందుకునేచోట ఆగిపోయేలా కట్టాడు. ఇప్పుడు చూస్తే ఆవిడ మరిచిపోయినట్టు లేదు, గుండె బరువెక్కి చెప్పలేకపోయినట్టుంది. దర్శకుడు కళ్ళు తుడుచుకుని, ఆ మౌనమే అసలైన నటన అన్నాడు. గుండెపోటు విలన్ బాబాయికి బదిలీ అయింది.

నేను ఉండబట్టలేక, "బావా, ఆ వయొలిన్ మాత్రం అదిరింది" అన్నాను.

ఆయన ముఖం మాడిపోయింది. "నీకు వినిపించిందా?"

"వినిపించదా మరి, ఎడిటర్ని కదా."

"నీకు వినిపిస్తే ఆవిడకీ వినిపిస్తుందిరా. ఎక్కడెక్కడ మరిచిపోయిందో నేను వేలు పెట్టి చూపించినట్టుంటుంది."

అని దాన్ని ఇంకా తగ్గించాడు. ఇన్నాళ్ళూ నేను పిచ్చి అనుకున్నదాని వెనక ఇంత దయ ఉందని అప్పటిదాకా నాకు తట్టలేదు.

ఎపిసోడ్ వచ్చిన మర్నాడు పెద్దావిడ తిన్నగా మా ఎడిటింగ్ గదికి వచ్చి బావ ఎదురుగా కూర్చుంది.

"ఏమనుకోకు నాయనా, నిన్నటి సీన్లో సంగీతం పెట్టడం మరిచిపోయినట్టున్నావు. ఏదో నేను ఉన్నాను కాబట్టి లాక్కొచ్చాను."

బావ లేచి నిలబడి, తప్పయిపోయిందమ్మా, ఇకమీదట జాగ్రత్తగా ఉంటానన్నాడు.

"పోనీలే, వయసు మీద పడుతోంది కదా, మతిమరుపు మామూలే" అని ఆవిడ ఆయన భుజం తట్టి వెళ్ళింది.

నాకు తెలిసి ఆయన ఆనందంగా అందుకున్న మెప్పు అదొక్కటే.