ఖాలా చెప్పిన టర్కీ పిల్లగాడు

ఖాలా పోయిందన్న కబురు ఫోనులో వచ్చింది. అప్పుడు నేను ఆమెను చూద్దామని వనపర్తి నుంచి బయల్దేరి, కొత్తకోట బస్టాండులో కూర్చొని ఉన్నాను. గద్వాలకు పోయే బస్సు ఏదీ రాదని తెలిసే కూర్చున్నాను. కృష్ణకు వరదొచ్చి బీచుపల్లి వంతెన దగ్గర బండ్లన్నీ ఆపేశారు. ఊరి పొడుగునా లారీలు నిలిచిపోయి ఉన్నాయి.

"అమ్మీ పోయిందే," అంది ఆమె బిడ్డ. ఏడవడం లేదు. "మట్టి ఈ సాయంత్రమే జేస్తరంట. నువ్వు మాత్రం ఈ నీళ్లల్ల బయల్దేరకు."

నేను వస్తున్నా అన్నాను. ఎట్లా వస్తానో నాకే తెలియదు. బస్టాండు పక్క దాబా ముందు మంచం మీద కూర్చున్న ఒక లారీ డ్రైవరును అడిగాను, ఎట్లన్న దాటొచ్చా అన్నా అని. అతను నన్ను కాసేపు చూసి, "యాడికి పోతవమ్మా, నీళ్లు వంతెనను ముట్టేటట్టున్నయ్. పోలీసులు మనిషిని గూడ పోనిస్తలేరు. జర కూసో," అని మంచం మీద జరిగి చోటిచ్చాడు. కూర్చున్నాను. గద్వాలలో ఆమెను తీసుకుపోతున్న ఆ సాయంత్రమంతా నేను అక్కడే, ఎవరో తెలియని మనిషి పక్కన కూర్చొనే ఉన్నాను.

ఆమె నాకు రక్త సంబంధం కాదు. గద్వాలలో మా ఇంటి పక్కిల్లు. మా నాన్న మగ్గం చప్పుడు వాళ్లింట్లోకి, వాళ్ల వంటింటి వాసన మా ఇంట్లోకి వచ్చేంత పక్క. ఆమె బిడ్డ, నేను ఒకే తరగతి. ఆ పిల్ల అమ్మ చెల్లెల్ని పిలిచినట్టే నేనూ ఆమెను ఖాలా అని పిలిచాను. ఆ పిలుపు అట్లాగే ఉండిపోయింది.

ఖాలా భర్త లారీ డ్రైవరు. మేం ఎనిమిదో తరగతిలో ఉన్నప్పుడు కర్ణాటకలో ఎక్కడో బండి బోల్తాపడి పోయాడు. ఏడాది తిరిగేలోపు ఖాలా మస్కట్‌కు పోయింది, ఒక ఇంట్లో మంచాన పడిన ముసలామెను చూసుకునే పనికి. బిడ్డను తన తల్లి దగ్గర వదిలింది. ఒక రకంగా మా అమ్మ దగ్గర కూడా. పోయే రోజు మా అమ్మ చెయ్యి పట్టుకుని, "వదినా, నా బిడ్డకు తల దువ్వేటప్పుడు జర మెల్లగ దువ్వు, దానికి చిక్కులెక్కువ," అని మాత్రమే అంది.

ఆమె తిరిగొచ్చింది నిరుడు. పోయినప్పుడు నిండుగా ఉన్న మనిషి, వచ్చేటప్పటికి మొహం ఉబ్బి, కాళ్లు వాచి ఉంది. మూత్రపిండాలు పాడైపోయాయని కర్నూలు పెద్ద దవాఖానలో చెప్పారు. అప్పటి నుంచి వారానికి రెండుసార్లు కర్నూలు పోయి డయాలసిస్ చేయించుకోవడమే ఆమె బతుకు. మధ్యలో తన మంచం మీద కూర్చొని, వీధిలో ఆడవాళ్లందరికీ ఆ టర్కీ పిల్లగాని కథ చెప్పేది.

ఆ కథ గురించి చెప్పాలి. ఎందుకంటే ఖాలా తన మస్కట్ బతుకు గురించి ఎవరు అడిగినా చెప్పలేదు. ఆ పిల్లగాని గురించే చెప్పింది.

అతను ఒక టీవీ సీరియల్ నటుడు. టర్కీ సీరియల్‌ను అరబ్బీలోకి మార్చి వేస్తే, ఖాలా పనిచేసే ఇంట్లో అందరూ పనులు ఆపి చూసేవాళ్లట. ముసలామెను దిండ్లకు ఆనించి కూర్చోబెట్టి, ఖాలా ఆమె కాళ్ల దగ్గర కూర్చునేది. ఆ ఇంటి మనవరాలు పత్రికల్లో అతని గురించి వచ్చిందంతా ముసలామెకు పైకి చదివి వినిపించేది. ఖాలా తనకు వచ్చిన వంటింటి అరబ్బీతో అర్థమైనంత అర్థం చేసుకుంది. మిగతాది తనే నింపుకుందేమో.

"వాళ్లది సముద్రం ఒడ్డున చిన్న ఊరు," అని మొదలుపెట్టేది. "వాని నాయిన బస్సు కండక్టరు. తల్లి అంగీలకు గుండీలు కుడుతుండె. పిల్లగాడు పొడుగు, మంచిగుంటడు, గని నత్తి. బడిల డ్రామా వేస్తే వానికి మాట లేని సిపాయి వేషం ఇచ్చిండ్రంట. తలుపు కాడ నిలబడుడే పని."

తండ్రి తొందరగా పోయాడు. పిల్లగాడు ఇస్తాంబుల్‌లో మామ రొట్టెల బట్టీలో పనికి కుదిరాడు. అక్కడికి రొట్టెలు కొనడానికొచ్చిన సీరియల్ వాళ్లెవరో అతని ఎత్తు చూసి, గుంపులో నిలబడడానికి పిలిచారు. ఏండ్ల పాటు గుంపుల్లోనే నిలబడ్డాడు. పెళ్లి గుంపు, శవం వెనక గుంపు, రైల్వే స్టేషన్ గుంపు. ఒకసారి అసలు హీరోకు జబ్బుచేస్తే ఇతన్ని పెట్టి తీశారు. తీస్తే ఏమైంది? వాళ్ల దేశంలో ఎవరూ చూడలేదు. సీరియల్ నడుమనే ఆపేశారు. పిల్లగాడు మళ్లీ బట్టీకి పోయాడు.

ఇక్కడికొచ్చాక ఖాలా దిండు సర్దుకుని నిటారుగా కూర్చునేది. ఆ తర్వాతిదే ఆమెకు ఇష్టమైన భాగం.

"ఒకరోజు వాడు పిండి చేతులతోటి రొట్టెలు తీస్తుండు. అరబ్బు ఆడోళ్లు నలుగురు, టర్కీ చూసెతందుకు వచ్చినోళ్లు, దుకాణంలకు వచ్చిండ్రు. వాన్ని చూసి బొమ్మల్లెక్క నిలబడ్డరు. ఒకామె ఏడ్వబట్టింది. వానికి ఏం తెల్వది పాపం. రొట్టె మాడిందేమో అనుకున్నడంట."

అతనికి తెలియకుండానే ఆ సీరియల్‌ను అరబ్బులు కొనుక్కున్నారు. ఎన్నో దేశాల్లో ఇంటింటా అతని మొహం వెలిగిపోతున్నది. ఆ తర్వాత అంతా పేరే. ఏ దేశం పోయినా విమానాశ్రయంలో పోలీసులు తాడు కట్టాల్సి వచ్చిందట.

"మరి వాని నత్తి ఏమైంది ఖాలా?" అని నేను అడిగాను ఒకసారి.

"దానికేమైతది, నత్తి నత్తే. అరబ్బీల మాట్లాడింది వేరేటోడు గద. అంతమంది వాని కోసం ఏడ్సిండ్రు, ఒక్కరు గూడ వాని గొంతు వినలే." తర్వాత బిడ్డ వైపు చూసి నవ్వింది. "నేను గూడ గట్లనే జేసిన. ఫోన్ల మంచిగున్న, మంచిగున్న అన్నదెవరు? నేను గాదు."

బిడ్డ లేచి లోపలికి పోయింది.

వనపర్తిలో నేను బడి పంతులమ్మను. అక్కడి ఇంటర్నెట్ సెంటరులో కూర్చొని ఒక ఆదివారం ఆ నటుని ఫొటో కోసం వెతికాను. పేరు తెలియదు. సీరియల్‌లో పాత్రకు అరబ్బులు పెట్టిన పేరు మాత్రమే ఖాలాకు తెలుసు, అది కూడా ఆమె పలికినట్టు రాస్తే ఏమీ దొరకలేదు. చివరికి టర్కీ నటుల మొహాలు దొరికినవన్నీ కాగితాల మీద తీయించి గద్వాల తీసుకుపోయాను. ఖాలా కళ్లద్దాలు పెట్టుకుని ఒక్కొక్క కాగితం ముందుకూ వెనక్కూ జరిపి చూసింది. "వీడు గాదు. వీడు గాదు. వీడు మంచిగనే ఉన్నడు గని వీడు గాదు." అన్నీ అయ్యాక కాగితాలు సర్ది నా ఒళ్లో పెట్టింది. "పోనీలే బేటీ. పేరు అడగాలని నాకు గప్పుడు తోచలే. ఆడ్నే ఉంట అనుకున్న."

వైద్యులు నీళ్లు తక్కువ తాగమన్నారు. ఆమెకది అన్నిటికంటే కష్టం. నోట్లో నీళ్లు పోసుకుని, కళ్లు మూసుకుని పుక్కిలించి, మళ్లీ గిన్నెలో ఉమ్మేసేది. మేం చూడనట్టు తలతిప్పుకునేవాళ్లం. తను తాగకపోయినా ఎవరు వచ్చినా టీ పెట్టించేది. ఏదన్నా బాధ చెప్పుకోవడానికి వచ్చిన వాళ్లతో, "ముందుగాల టీ తాగు, ఏడ్సేది తర్వాత ఏడుద్దువు," అనేది. ఆ మాట ఇప్పుడు మా వీధిలో అందరి నోటా ఉంది.

ఆమె తన గురించి చెప్పింది ఒక్కసారే. బిడ్డ ఇంట్లో లేదు. నేను కాళ్లకు నూనె రాస్తున్నాను. ఆమె తల్లి, అంటే బిడ్డను పెంచిన అమ్మమ్మ, ఖాలా మస్కట్‌లో ఉండగానే పోయింది. ఫోను పొద్దున వచ్చిందట. తనను పంపమని ఆ ఇంటి వాళ్లను అడిగింది. ముసలామెను చూసుకోవడానికి వేరే మనిషి దొరికేదాకా ఆగమన్నారు. పాస్‌పోర్టు వాళ్ల దగ్గరే ఉంది. సాయంత్రం ఎప్పటిలాగే సీరియల్ పెట్టారు. ఆరోజు కథలో ఆ పిల్లగాడు పడవ మునిగి కనబడకుండా పోయాడు.

"అందరు ఏడ్సిండ్రు. నేను గూడ ఏడ్సిన. మస్తు ఏడ్సిన బేటీ, ఆపుకోలేక. ముసలమ్మ నా నెత్తి మీద చెయ్యి పెట్టి, ఊకో, ఊకో, రేపు వస్తడు, వాడు చావడు అన్నది. నేను గూడ అవునమ్మా అన్న. ఇంకేం జెయ్యాలె?"

నూనె గిన్నె పట్టుకుని అట్లాగే కూర్చున్నాను. ఆమె కాలు వెనక్కి తీసుకుంటూ, "ఇంక సాలు, సల్లబడ్డది," అంది.

ఈ యేటి వరద గురించి అందరికీ తెలుసు. మాది నడిగడ్డ, పైన కృష్ణ, కింద తుంగభద్ర. రెండూ ఒక్కసారే పొంగాయి. కర్నూలు ఊరే మునిగింది. ఖాలా పోవాల్సిన దవాఖాన అవతల ఉండిపోయింది. ఇటు పాలమూరు దవాఖానకు పోదామంటే వంతెన బందు. ఆమె బిడ్డ గద్వాల దవాఖానకు తీసుకుపోయింది. అక్కడి డాక్టరు మంచివాడు. ఆయన దగ్గర డయాలసిస్ యంత్రం లేదు. "తోవ తెరిచేదాక ఎట్లన్న ఆగాలమ్మా," అన్నాడట.

కరెంటు లేదు. నేను ఫోను చేసినప్పుడల్లా బిడ్డ పక్కింటి నుంచి మాట్లాడేది, తన ఫోనులో చార్జింగు అయిపోయి. అధికారుల నంబర్లు ఎవరెవరివో తెలుసుకుని నేను వనపర్తి నుంచి చేశాను. ఎత్తిన వాళ్లు మర్యాదగానే మాట్లాడారు. పడవలు మునిగిన ఊళ్ల దగ్గరున్నాయన్నారు. వాళ్లు చెప్పింది నిజమే. ఎవరి మీద కోపం తెచ్చుకోవాలో తెలియలేదు.

ఒకసారి ఫోను ఖాలా చెవి దగ్గర పెట్టారు. ఊపిరి బరువుగా వినబడింది.

"ఖాలా, తోవ ఇయ్యాల రేపు తెరుస్తరు. నేనొస్త," అన్నాను.

"రా బేటీ," అంది. "బస్సుల కిటికీ కాడ కూసోకు, జల్లు కొడ్తది."

అదే చివరి మాట.

నీళ్లు తీశాక మొదటి బస్సులో పోయాను. బస్సు మెల్లగా వంతెన దాటింది. రోడ్డుకు అటూ ఇటూ చేనంతా ఎర్రటి బురద, పత్తి మొక్కల కొసలు మాత్రం పైకి కనబడుతున్నాయి.

ఖాలా ఇంటి తలుపు బార్లా తెరిచి ఉంది. లోపల అంతా తెలియని మనుషులు. తుంగభద్ర ఒడ్డున ఊళ్లు మునిగి వచ్చిన వాళ్లు. వాళ్లకు బడిలో చోటు చాలకపోతే వీధిలో ఇల్లిల్లూ తెరిచారు. ఆమె బిడ్డ కూడా తెరిచింది. మట్టి చేసిన మరునాడే. నన్ను చూసి పొయ్యి దగ్గర నుంచి లేవబోయి, మళ్లీ కూర్చుంది. రెండు చేతులా పిండి ఉంది. నేను పక్కన కూర్చుని రొట్టెలు కాల్చాను.

ఖాలా మంచం మీద ఎవరో బాలింత, పిల్లను పొట్టకు ఆనించుకుని నిద్రపోతున్నది. వాకిట్లో గోడ నుంచి గోడకు తాళ్లు కట్టి, తడిసిన చీరలు ఆరేసి ఉన్నాయి. ఎన్ని నీళ్లలో పిండినా బురద రంగు పోని చీరలు. వాటి కింద కూర్చున్న ఒక అవ్వకు నేను రొట్టె ఇచ్చాను. ఆమె రొట్టె తీసుకుని, నా మొహం చూసి, చెయ్యి పట్టి పక్కన కూర్చోబెట్టుకుంది.

"నీది గూడ మునిగిందా బిడ్డా?" అంది.

అవునవ్వా అన్నాను. ఆమె రొట్టెను రెండు చేసి సగం నా చేతిలో పెట్టింది. పైన చీరల కొసల నుంచి నీళ్లు ఒక్కొక్క చుక్కే మా ఇద్దరి మీదా పడుతున్నాయి.