సగం దేవుడు తాగిన చెంబు

నా చిన్నప్పుడు ఒక ఎండపూట, మా వాకిట్లో పీట మీద కూర్చుని చెంబెత్తి నీళ్లు తాగుతున్న కృష్ణుడి తల మీది నుంచి మా మేనత్త కిరీటం తీసేసింది. కృష్ణుడు తాగడం ఆపలేదు. వాకిలినిండా ఉన్న మా ఇంటివాళ్లమే ఊపిరి ఆపాం.

కృష్ణుడంటే నా ఈడు ఆడపిల్ల, చిందోళ్ల పిల్ల. బోధన్ చుట్టుపక్కల ఊళ్లలో తరతరాలుగా చిందు భాగవతం ఆడే కుటుంబాలు ఉండేవి. ఒక్కో కుటుంబానికి కొన్ని ఊళ్లు. తాతలు ఆడిన ఊళ్లోనే మనుమలూ ఆడేవారు. పిల్లలకు నడక రాగానే అడుగు, మాట రాగానే పద్యం నేర్పేవారు. ఈ పిల్ల కూడా అలా తయారైనదే. చెరకు నరుకుడు అయిపోవచ్చే రోజుల్లో వాళ్ల మేళం మా ఊరి మాదిగవాడలో దిగి, పట్టపగలే ఊరి నడుమ ఆడేది.

ఆటకు ముందు మా ఇంటికి రావడం ఆచారం. మా తాత ఊరి పటేలు. మేళం వాళ్లు కృష్ణుడి వేషం కట్టిన పిల్లను మా ప్రహరీ దాకా తెచ్చి ఆగిపోయేవారు. పిల్ల ఒక్కతే లోపలికి వచ్చేది. పీట వేసి కాళ్లు కడిగి, మా నాయనమ్మ ఆమె నోట్లో వెన్న పెట్టేది. తాత ఆ పాదాలకు నుదురు ఆనించేవాడు. మిగిలిన వెన్న మాకందరికీ ప్రసాదం. ఆఖరున దేవుడి గదిలోని ఇత్తడి చెంబుతో నీళ్లు. కిరీటం తల మీద ఉన్నంతసేపూ ఆ పిల్ల దేవుడే. అది దిగిందంటే మా వాకిట్లో అడుగు పెట్టడానికి లేదు, మా బావిలో చేద వేయడానికి లేదు.

ఆ రోజు వేషం ప్రహరీ బయట ఉన్న మా పశువుల కొట్టం వెనక కట్టారు. మేనత్త ఎడ్లకు గడ్డి వేస్తోంది. నేను ఆమె వెంట ఉన్నాను. చిందోళ్లు ముఖానికి అర్దళమని ఒక పసుపుపచ్చటి రాయిని నూరి పూస్తారు. ఎండ తగిలితే అది మండుతుంది. పిల్ల చెంపలు అప్పటికే పొక్కి ఉన్నాయి.

“మండుతున్నదే అవ్వా, కడుక్కుంట,” అని తల్లిని బతిమాలుతోంది. “నీళ్లన్న తాపియ్యి.”

“జర ఓర్సుకో బిడ్డా. పటేలింట్ల చెంబిస్తరు గద! తాగెదాంక కిరీటం దించకు. ఇప్పుడు మొఖం కడిగితే నీకు చెంబెవలిస్తరు?”

తల్లి గొంతులో కోపం లేదు, ఏడుపూ లేదు. పద్యం అప్పజెప్పించినట్టు చెప్పింది. అది కూడా వాళ్ల విద్యలో ఒక పాఠమేనని నాకు చాలా ఏళ్లకు గాని తట్టలేదు. మేనత్త ఆ మాట విన్నది. గడ్డి చేతిలోనే ఉండిపోయింది.

మేనత్త చిన్న వయసులోనే భర్త పోయి పుట్టింటికి వచ్చిన మనిషి. దేవుడి ఎదటికి రావద్దని ఆమెకు ఎవరూ చెప్పేవారు కాదు. చెప్పవలసిందంతా ఎప్పుడో చెప్పేశారు. ఏటా స్తంభం వెనక నిలబడి చూసేది. ఆ రోజు పిల్ల నాలుగు గుటకలు వేసిందో లేదో, నేరుగా ముందుకు వచ్చి, గడ్డం కింది ముడి విప్పి, కిరీటం తీసి చంకలో పెట్టుకుంది.

“ఏం జేసినవే!” అన్నాడు తాత.

“తాడు ఒత్తుతున్నది బాపూ. పోరి చెవులు జూడు, ఎట్ల కమిలినయో.”

“తాగినంక తీస్తే ఏమైతుండె?”

“ఏం గాకపోతుండె. గందుకే ఇప్పుడు తీసిన.”

తాత చెయ్యి చెంబు వైపు లేచి, గాలిలోనే ఆగింది. దేవుడి చేతిలోది లాక్కుంటే పాపం. చిందోళ్ల పిల్ల చేతిలోది ముట్టుకుంటే మైల. ఏది ఎవరి చెయ్యో తేల్చుకోలేక మా ఇంటి మగవాళ్లు అలాగే నిలబడ్డారు. వాళ్లు అలా నిలబడిపోతారని మేనత్తకు ముందే తెలుసు. పిల్ల తాపీగా తాగింది. ప్రహరీ అవతల తల్లి చేతులు జోడించి, “కాల్మొక్త దొరా, పోరికి తెల్వదు,” అని వేడుకుంటోంది.

“మొఖం గూడ కడుక్కో బిడ్డా,” అన్నది మేనత్త.

పిల్ల మిగిలిన నీళ్లు ముఖాన పోసుకుంది. పచ్చరంగు కారి ముగ్గులో కలిసింది.

ఆ తరువాత చూసినది తలుచుకుంటే ఇప్పటికీ నాకు రోత. నాయనమ్మ ప్రసాదం ఉమ్మేసింది. మా చిన్నాయనలు ఉమ్మేశారు. నా నోట్లో వెన్న ఇంకా కరగలేదని నాయనమ్మ వేలు పెట్టి అంగిలి దాకా గీకి పారేసింది. కాసేపటి కిందట కన్నీళ్లతో ఆ పాదాలకు ఆనించిన నుదుటిని, తాత బావి దగ్గర చింతపండు పెట్టి గిన్నె తోమినట్టు తోముకున్నాడు. గాలి మళ్లి బోధన్ చక్కెర ఫ్యాక్టరీ మడ్డి కంపు ఊరి మీదికి వచ్చింది. ఆ కంపు ఫ్యాక్టరీదో మా ఇంటిదో నాకు తెలియలేదు.

చెంబు పీట పక్కనే ఉంది.

“గిప్పుడు దీన్ని దేవునర్రల వెట్టాల్నా, పెంట మీద పారెయ్యాల్నా?” అన్నది నాయనమ్మ. “సగం దేవుడు తాగిండు, సగం గీ పోరి తాగింది.”

“దేవుడు తాగిన సగం ఏదో సూపియ్యి అమ్మా,” అన్నది మేనత్త. “గంతమట్టుకు కోసి దేవునర్రల వెడ్త.”

నేను నవ్వాను. దెబ్బ తిన్నాను. సాయంత్రం గుడి అయ్యగారిని పిలిపించారు. ఆయన చెంబును దూరం నుంచే చూసి, బోధన్‌లో శాస్త్రం తెలిసిన పెద్దవాళ్లను అడిగి కబురు చేస్తానని వెళ్లాడు.

మేళం వాళ్లు ఆ తరువాత ఊరికి వచ్చినా మా ఇంటికి కృష్ణుణ్ణి తేలేదు. ఆ తల్లి మా మేనత్తను దీవించిందో, బిడ్డకు దొరికే చెంబెడు నీళ్లు కూడా పోగొట్టిందని తిట్టుకుందో నాకు తెలియదు. మేనత్త మాత్రం చెంబు తోముకుని, బతికినన్నాళ్లూ అందులోనే తాగింది.

పెద్దయ్యాక పత్రికలో పనిచేస్తూ ఎన్నో సన్మానాలు చూశాను. శాలువా కప్పేటప్పుడు అందరూ ఆ మనిషి ముఖం చూస్తారు. నేను అది భుజం మీది నుంచి దిగేదాకా ఆగి, అప్పుడు మంచినీళ్లు ఎవరిస్తారా అని చూస్తాను. ఆ అలవాటు ఇప్పటికీ పోలేదు.

మేనత్త పోయాక, ఇంటి సామాన్ల పంపకాల్లో ఆ చెంబును ఎవరూ తమ వాటాలో వేసుకోలేదు. పారేయడానికీ ఎవరికీ చేతులు రాలేదు. పాత ఇంటి వసారా గూట్లో ఉంది. బోధన్ నుంచి కబురు ఇంకా రాలేదు.