కింది వాటా డైరెక్టర్ గారు

మా పాత ఇంటి కింది వాటా డైరెక్టర్ గారు పోయారని మొన్న ఆయన కూతురు ఫోన్ చేసింది. “నిజంగానేనా?” అన్నాను. ఆ అమ్మాయి నొచ్చుకోలేదు. “నాన్న పోయారంటే అందరూ ముందు అదే అడుగుతున్నారు,” అంది.

డెబ్బైల చివర్లో మావారికి న్యూ హాంప్‌షైర్‌లో ఉద్యోగం దొరికి, ఒక పాత బట్టల మిల్లుల ఊళ్లో ఆయన ఇంటి పై వాటాలో దిగాం. ఆ ఊళ్లో చాలామంది కెనడా నుంచి మిల్లు పనికి వచ్చిన ఫ్రెంచివాళ్ల సంతానం. వాళ్ల చర్చి హాళ్లలో ఏళ్ల తరబడి ఫ్రెంచి హాస్యనాటకాలు ఆడి పేరు తెచ్చుకున్నారాయన. ఎవరి నడకైనా ఒకసారి చూస్తే చాలు, అచ్చం దించేసేవారు. అందుకే మెట్లమీద ఆయన ఎదురైతే నేను నడక మార్చేదాన్ని.

నాటకాలు ఎందుకు మానేశారని ఒకసారి అడిగాను.

“ఫ్రెంచి మరిచిన పిల్లలు నా మాటకు నవ్వడం మానేసి, ఏమన్నాడని తల్లుల్ని అడగడం మొదలుపెట్టారు మేడమ్. ఇక మాట అక్కర్లేని నవ్వు వెతుక్కోవద్దూ?”

అలా యాభై దాటాక ఒక పాత కెమెరా కొని సినిమా డైరెక్టరయ్యారు. మొదటి చిన్న సినిమాలో కుళాయి బాగుచెయ్యడానికొచ్చి వంటిల్లు ముంచేసే ఇంటి ఓనరు ఆయనే. అద్దెకున్నావిడగా నన్ను వెయ్యమన్నారు.

“వద్దులే,” అన్నారు మావారు. “లైఫంతా జనాన్ని ఇమిటేట్ చేసిన మనిషి. ఇప్పుడు నీ చీర, నీ యాక్సెంట్ దొరికాయి.”

నా అనుమానమూ అదే. కానీ పగలంతా ఒక్కదాన్నే ఉండి విసుగెత్తిపోయి ఉన్నాను. నా చీరే కట్టుకుంటాను, నా భాషే మాట్లాడతాను అన్నాను. డైరెక్టర్ గారు వెంటనే సరేనన్నారు. అంత తేలిగ్గా ఒప్పుకునేసరికి అనుమానం ఇంకా పెరిగింది.

“నన్నే ఎందుకు?”

“మీరు నన్ను నమ్మరు. నమ్మని ముఖాన్ని కెమెరా వదలదు.”

మా వంటింట్లోనే షూటింగు. ఆయన పానా తిప్పగానే నీళ్లు చిమ్మి, తెరిచి ఉన్న నా పప్పు డబ్బా నిండిపోయింది. నటన మరిచిపోయాను. “అయ్యో నా కందిపప్పు! ఇండియా నుంచి మోసుకొచ్చానయ్యా, బుద్ధుందా మీకు?” అని తెలుగులో కడిగేశాను. కెమెరా ఆగలేదు.

చర్చి హాల్లో ఆ సినిమా వేసిన రోజు, సరిగ్గా అక్కడే జనం పగలబడి నవ్వారు. నాకు ఒళ్లు మండిపోయింది. ఇంటికొచ్చి ఆయన తలుపు కొట్టాను.

“నన్ను నవ్వులపాలు చేశారు.”

“రేపు ఇంకో ఆట ఉంది. తెర చూడకండి, జనాన్ని చూడండి,” అన్నారు.

మర్నాడు ముందు వరసలో వెనక్కి తిరిగి కూర్చున్నాను. నేను తిడుతున్నంతసేపూ హాలు నిశ్శబ్దంగా ఉంది. ఒక ముసలావిడ అంతా అర్థమైనట్టు తలాడించింది. నా గొంతు ఆగాక లేచింది నవ్వు. అప్పుడు తల తిప్పి చూశాను. తెరమీద ఆయన ఒక్కరే ఉన్నారు, తడిసి ముద్దై, పానా పట్టుకుని, తల వంచుకుని.

“నవ్వించేవాణ్ణి నమ్మకండి మేడమ్. నవ్వులపాలయ్యేవాణ్ణి నమ్మండి,” అన్నారు బయటికొచ్చాక.

“మరి పప్పు?”

“అది మాత్రం నిజంగా పొరపాటే.”

ఆ ఒక్క మాట ఈ రోజుకీ నమ్మను.

తర్వాత ఆయన తీసిన సినిమాలన్నిటిలో ఎక్కడో ఒకచోట నేనున్నాను. మేం న్యూజెర్సీకి మారాక కూడా కబురు పెట్టేవారు, వెళ్లేదాన్ని. ఆ ఊళ్లో నన్ను పలకరించేవాళ్లున్నారంటే అది ఆయన చలవే.

పక్షవాతంతో మాట పడిపోయిందని తెలిసి పోయిన చలికాలం చూడబోయాం. కిటికీ పక్కన చక్రాల కుర్చీలో ఉన్నారు. వీధిలో మంచు తోసే బండి వస్తోంది. ఆయన బాగున్న చెయ్యి పైకెత్తారు. బండి నెమ్మదించింది. అరచెయ్యి ఎడమకు ఊపారు. బండి ఎడమకు జరిగింది. పిడికిలి బిగించారు. ఆగింది.

ఆ డ్రైవరుకు ఈ కిటికీ కనిపిస్తుందా అని నేను దగ్గరికి వెళ్లి తొంగిచూశాను. అద్దమంతా మంచు పట్టి, దీపాల వెలుగు తప్ప ఏమీ ఆనడం లేదు; లోపలి చెయ్యి అతనికి కనిపించే వీల్లేదు. బయట ఆ బండి, దీపాలు వెలిగించుకుని, ఆ చెయ్యి దిగేదాకా కదలనన్నట్టు అక్కడే నిలబడి ఉంది.